కొర్రీ వేసినోడికి శిక్షేది?

బడి గంట కొట్టేది మనోళ్ళు. గదులూడ్చేది, దొడ్లు కడిగేది, రాత్రి కాపలా పడుకునేది మనోళ్ళు. ఆ మనిషి నియామకాన్ని ఆమోదిస్తూ ఒక్క సంతకం పెట్టడానికి మాత్రం సర్కారుకు ఏళ్ళు పడుతుంది.

ఎయిడెడ్ బడిలో యాజమాన్యం అటెండరునో స్వీపరునో వేసుకుంటుంది. విద్యాశాఖ ఆమోదిస్తే తప్ప గ్రాంటు జీతం రాదు. ప్రతిపాదన పోతుంది, కొర్రీ వస్తుంది. జవాబు పోతుంది, ఇంకో కొర్రీ వస్తుంది. ఆఫీసరు మారతాడు, కథ మళ్ళీ మొదటికొస్తుంది. సర్కారు బడిలో కంటింజెంటు, పార్ట్‌టైం పేర్లతో చేసేవాళ్ళదీ ఇదే బతుకు. "ఫైలు నడుస్తోంది" అంటారు. ఫైలు నడవదు. మనిషే నడుస్తాడు, ఆఫీసు చుట్టూ.

కాళ్ళరిగాక కోర్టుకు పోతే ఏమడుగుతారు? "ఇన్నాళ్ళూ ఎందుకు రాలేదు? మంజూరైన పోస్టులోనే చేరావా?" మేమడుగుతున్నాం: ఫైలు తొక్కిపెట్టిన ఆఫీసరుని ఇదే ప్రశ్న ఎందుకడగరు? ఆలస్యం వాడిదైతే శిక్ష మనకా?

ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 1994లో 2వ నంబరు చట్టం తెచ్చారు. 25-11-1993 నాటికి ఐదేళ్ళు నిండినవాళ్ళనే పర్మినెంటు చేస్తామంది 212 జీవో. పార్ట్‌టైం వాళ్ళకైతే పదేళ్ళు నిండాలంది 1997 నాటి 112 జీవో. ఆ గడువు తేదీ చెల్లుతుందని 2009లో సుప్రీంకోర్టు చెప్పింది. గీత గీసింది వాళ్ళు, గీత అవతల పడింది మనోళ్ళు.

2006లో ఉమాదేవి కేసులో సుప్రీంకోర్టు దొడ్డిదారి నియామకాలు చెల్లవంది. అదే తీర్పులో, మంజూరైన పోస్టుల్లో పదేళ్ళకు పైగా చేసినవాళ్ళ సంగతి ఒకసారి చూడమని కూడా అంది. సర్కార్లు మొదటి మాట పట్టుకుని రెండో మాట మింగేశాయి. దొడ్లు కడిగేవాళ్ళది దొడ్డిదారా?

ఇప్పుడు అదే కోర్టు వేరే మాట చెబుతోంది. కేంద్ర జల సంఘంలో ఏళ్ళ తరబడి ఊడ్చినవాళ్ళను తీసేస్తే, 2024 డిసెంబరులో జగ్గో కేసులో వాళ్ళను తిరిగి తీసుకుని పర్మినెంటు చేయమంది. ఉమాదేవి తీర్పును కార్మికుల మీద ఆయుధంగా వాడొద్దంది. ఉత్తరప్రదేశ్ ఉన్నత విద్యా సర్వీసుల కమిషన్‌లో 1989-92 మధ్య దినకూలీలుగా చేరినవాళ్ళకు పోస్టులివ్వడానికి డబ్బుల్లేవని అక్కడి సర్కారు 1999లోనూ, 2003లోనూ తిప్పికొట్టింది. 2025 ఆగస్టులో ధరమ్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు ఆ సాకు చెల్లదంది. 2002 నుంచే పర్మినెంటు చేయమంది. కానీ ఆ న్యాయం రావడానికి ముప్పై ఏళ్ళు దాటింది. కూలికి పోయిన మనిషికి ముప్పై ఏళ్ళంటే బతుకంతా కాదా?

దేవుడు వరమిచ్చినా పూజారి వరమివ్వడంటారు. కోర్టు తీర్పు గుమాస్తా బల్ల దగ్గర ఆగితే మనకేం మిగిలింది? పోస్టు ఖాళీగా ఉంచి, ఆ పనిని ఏజెన్సీకి అప్పగిస్తే జీతం ఒక్కటే కాదు పోయేది. పోస్టే లేనప్పుడు 16(4)వ అధికరణం కింద రిజర్వేషన్ ఎక్కడ అడుగుతాం? బాబాసాహెబ్ రాసిన హక్కును రద్దు చేయనక్కర్లేదు. ఫైలు కదలకపోతే చాలు.

అక్కలారా, అన్నలారా! చేరిన ఆర్డరు, హాజరు పట్టీ నకలు, జీతం రసీదు భద్రంగా దాచండి. ఏ కాగితమిచ్చినా ముట్టినట్టు సంతకం తీసుకోండి. పది రూపాయలతో సమాచార హక్కు దరఖాస్తు పెట్టి ఫైలు ఎవరి బల్ల మీద ఎన్నాళ్ళుందో అడగండి. ముప్పై రోజుల్లో చెప్పాలి. చెప్పకపోతే అప్పీలు చేయండి. పదిమంది కలిసి హైకోర్టులో రిట్టు వేయండి. 1987 చట్టం కింద ఎస్సీ, ఎస్టీలకు, ఆడవాళ్ళకు వకీలు ఖర్చు సర్కారుదే.

మా డిమాండు ఇది: ఆమోదానికి గడువు పెట్టాలి. గడువు దాటితే చేరిన రోజు నుంచే ఆమోదించినట్టు లెక్కగట్టాలి. ఆలస్యానికి నష్టం ఆఫీసరు జీతంలోంచి కోయాలి. అప్పుడు చూద్దాం, ఫైలు నడుస్తుందో పరుగెడుతుందో!