పెరిగినదన్న మాటకు పూచీ యెవరు?

మన సీమలో నాలుగు రూకలు వెనుకవేసినవాడు పూర్వము మూడు త్రోవలే యెరుగును: నేల కొనుట, బంగారు చేయించుట, వడ్డీకిచ్చుట. తిరుపతిలో నొక యింటి స్థలము, చిత్తూరు చేరువ నొక మామిడితోపు, ఇల్లాలి మెడలో కాసులపేరు. ఇంతటితో వాని భాగ్యము ముగియుచుండెను. ఇప్పుడు నాల్గవ త్రోవ తెరచుకొన్నది. పట్టణములలోని యుద్యోగులే గాక, బెల్లమును వేరుసెనగను అమ్ముకొన్న రైతుల బిడ్డలు సయితము కంపెనీల వాటాలు కొనుచున్నారు. వాటాలు నిలువయుంచుకొను డీమాటు ఖాతాలు దేశమందు 2024వ సంవత్సరమున 15 కోట్లు దాటినవి. నేల కొనువాడు గట్లు త్రొక్కి చూచును, ఇరుగుపొరుగు రైతుల నడుగును, రిజిస్ట్రారు కచ్చేరిలో ఈసీ తీయించును. వాటా కొనువాడు చూచునదేమి? కంపెనీవారి మాట. వ్యాపారము నిరుటికంటె నింత పెరిగినది, వచ్చు సంవత్సరము మరింత పెరుగనున్నది అను మాట. ఆ మాట కల్ల యని తేలిననాడు వాడు పోయి యెవరి నడుగవలెను?

అమెరికా దేశమున దీనికి జవాబున్నది. అక్కడ వాటా వెల కూలినచో వాటాదారులు న్యాయస్థానమున కెక్కుదురు. ఒక్కడు దావా వేసినను అదే విధముగా మోసపోయిన వేలమంది పక్షమున అది నడచును. తాను వలదని తప్పుకొన్నవాడు తప్ప తక్కినవారందరు అందలి ఫలమున కర్హులు. న్యాయవాది ముందుగా రూక పుచ్చుకొనడు. గెలిచిన సొమ్ములో న్యాయస్థానము నిర్ణయించిన పాలు తీసికొనును. ఇట్టి దావాలకు తరచుగా గురియగునవి చిల్లర వర్తకపు మహా కంపెనీలు. దాని కొక కారణమున్నది. ఒక రైతు నిరుడు నూరు బస్తాల వేరుసెనగ, ఈయేడు నూటయిరువది బస్తాలు పండించితినని చెప్పెననుకొందము. విన్నవారు మెచ్చుకొందురు. కాని ఈయేడతడు పది యెకరములు అదనముగా గుత్తకు తీసికొన్న సంగతి దాచినచో? ఎకరమునకు పంట తగ్గియుండవచ్చును. మొత్తము మాత్రము పెరిగినది. దుకాణముల కంపెనీలు చేయగల మాయ సరిగా నిదియే. ఏటేట క్రొత్త దుకాణములు తెరచినచో మొత్తము అమ్మకము పెరుగుచునే యుండును. పాత దుకాణమున అమ్మక మెంత అనునదే యసలు లెక్క. ఆ లెక్కను మరుగుపరచి మొత్తము నొక్కదానినే చాటువారిని చదువరులు కొంచెము అనుమానముతో చూచుట మంచిది.

ఇంగ్లండులోని టెస్కో కంపెనీ వేరొక యుపాయము చూపినది. తన కంగళ్ల సరకు సరఫరా చేయువారినుండి రావలసిన సొమ్మును, రాకమునుపే లాభముగా వ్రాసికొన్నది. 2014 సెప్టెంబరులో, చాటిన లాభములో 25 కోట్ల పౌనులు అధికమని తానే యొప్పుకొన్నది. పిదప లెక్క 26 కోట్లు దాటినది. అమెరికాలోని వాటాదారులతో 1 కోటి 20 లక్షల డాలర్లకు 2015లో రాజీపడినది. స్వదేశమున 2017లో దాదాపు 13 కోట్ల పౌనుల జరిమానా గాక, ఆ తప్పుడు లెక్క నమ్మి కొన్నవారికి సుమారు 8 కోట్ల 50 లక్షల పౌనులు పరిహారమీయ నొప్పుకొన్నది. విచారణకు గురియైన యుద్యోగులపై నేరము మాత్రము నిలువలేదు. అయినను నమ్మి కొన్నవానికి కొంత చేతికి వచ్చినది, అదియు మూడు సంవత్సరములలోపల.

ఇట్టి దావాలు పెరిగినచో వ్యాపారి నోరు విప్పుటకే భయపడునని కొందరందురు. ఈ మాటలో కొంత నిజమున్నది. అమెరికాలోను వాటా వెల పడినప్పుడెల్ల దావా వేయు న్యాయవాదులు లేకపోలేదు. అందుకే 1995లో వారి శాసనసభ తగు హెచ్చరికతో చెప్పిన భవిష్యదంచనాలకు రక్షణ కల్పించినది. అది న్యాయమే. వాన పడినచో పుట్టెడు పండునని చెప్పిన రైతు, వాన పడకపోయిన అబద్ధీకుడు కాడు. గాదెలో పుట్టెడున్నదని చెప్పి ఖాళీ గాదె చూపినవాడు అబద్ధీకుడు. రెంటికి గల యీ భేదము మన పల్లెలలో పసిబాలురకు సయితము తెలియును. దీనిని న్యాయస్థానములు తెలిసికొనలేవని భయపడుట యనవసరము.

మనకు చేరువలోని మద్రాసునే చూడుడు. 1997లో అచ్చట నొక దుకాణముతో ప్రారంభమైన సుభిక్ష యను చౌక సరకుల వ్యాపారము 2008 నాటికి దేశమంతట సుమారు 1,600 దుకాణములకు ప్రాకినది. అంతటి వేగమునకు తగిన సొంత మూలధనము లేదు. అప్పు దొరకుట నిలిచినంతనే 2009 ప్రారంభమున తలుపులన్నియు మూతపడినవి. జీతములు నిలిచినవి, సరకిచ్చినవారి బాకీలు నిలిచినవి. ఆ కంపెనీ వాటాలు విపణిలో అమ్మకమునకు రాలేదు గనుక సామాన్య వాటాదారులు నష్టపడలేదు. కాని దాని స్థాపకుని వేరొక సంస్థలో డిపాజిట్లు పెట్టినవారు మునిగిరి. ఆ వ్యవహారమున 2023లో మద్రాసు ప్రత్యేక న్యాయస్థానము ఆయనకు ఇరువది సంవత్సరముల శిక్ష విధించెను. అంగడి మూతపడిన పదునాలుగేండ్లకు!

సుభిక్ష మూతపడిన ఆ చలికాలమందే హైదరాబాదులో దానికి నూరంతల పిడుగు పడినది. 2009 జనవరి 7వ తేదీన సత్యం కంప్యూటర్సు అధ్యక్షుడు బి. రామలింగరాజుగారు తమ డైరెక్టర్ల సంఘమునకు వ్రాసిన లేఖను తెలుగువారు మరువలేరు. 1987లో మన రాజధానిలో పుట్టి, 2001లో న్యూయార్కు విపణి కెక్కిన కంపెనీ యది. మనవాడు లోకమంతట పేరు తెచ్చుకొన్నాడని మన మందరము పొంగిపోయినవారమే. అంతకు ముందటి సంవత్సరమే, కంపెనీ పరిపాలన ఆదర్శప్రాయముగా నున్నదని దానికి బంగారు నెమలి బహుమానము కూడ లభించినది! లేఖలోని యంకెలు చూడుడు. 2008 సెప్టెంబరుతో ముగిసిన మూడు నెలలలో వ్యాపారము 2,700 కోట్లనియు, అందు మిగులు 649 కోట్లనియు చాటిరి. నిజమైన వ్యాపారము 2,112 కోట్లు. మిగులు 61 కోట్లు మాత్రమే. బ్యాంకులలో నిలువ 5,361 కోట్లని చూపిరి. అందు 5,040 కోట్లు లేనేలేవు. నూటికి తొంబదినాలుగు రూపాయలు కాగితముపైననే యున్నవన్నమాట. ముందునాడు 179 రూపాయలున్న వాటా ఆ యొక్కనాడే 40 రూపాయలకు దిగెను. రాజోద్యోగులు ధనమపహరించు విధములు నలువదియని కౌటిల్యుడు లెక్కించెను. లేని ధనమును ఉన్నదని చూపి పొరుగువాని ధనము నాకర్షించు ఈ విధము ఆ నలువదిలో చేరునో, నలువదియొకటవదో, పండితులు చెప్పవలెను.

పిమ్మట జరిగినది చదువరులు నెమ్మదిగా నాలోచింపవలసినది. న్యూయార్కులో ఆ కంపెనీ పత్రములు కొన్నవారు అచటి న్యాయస్థానమున సామూహిక దావా వేసిరి. 2011లో కంపెనీ 12 కోట్ల 50 లక్షల డాలర్లు, లెక్కలు పరీక్షించిన ప్రైస్ వాటర్‌హౌస్ సంస్థలు 2 కోట్ల 55 లక్షల డాలర్లు చెల్లించుటకు రాజీపడినవి. మన దేశమున మిడాస్ టచ్ ఇన్వెస్టర్స్ అసోసియేషన్ అను మదుపుదారుల సంఘము సుమారు 3 లక్షల మంది చిన్న వాటాదారుల పక్షమున 5,000 కోట్లకు దగ్గరి పరిహారము కోరుచు జాతీయ వినియోగదారుల కమిషను నాశ్రయించెను. ఆ కమిషను వినలేదు. 2009లోనే సుప్రీంకోర్టును జోక్యమునకు నిరాకరించెను. ఒక్క మోసమే, ఒక్క కంపెనీయే, ఒక్క అబద్ధపు టంకెయే. న్యూయార్కులో కొన్నవానికి పరిహారము, నెల్లూరులోనో చిత్తూరులోనో కొన్నవానికి శూన్యము.

అంతేకాదు. ఆ 12 కోట్ల 50 లక్షల డాలర్లు, అనగా నాటి మారకమున 550 కోట్ల రూపాయలకు పైబడిన సొమ్ము, ఎవరి సంచినుండి పోయినది? మోసగించిన వారి సంచినుండి కాదు. 2009లో టెక్ మహీంద్రా చేతికి వచ్చిన కంపెనీ ఖజానానుండి పోయినది. కంపెనీ ఖజానా యనగా దాని వాటాదారుల సొమ్మే గదా. వాటా నమ్ముకొనక పట్టుకొని కూర్చున్న భారతీయుడు, తాను మోసపోయినది చాలక, తనవలెనే మోసపోయిన అమెరికావాని నష్టమునకు తన పాలు చెల్లించినవాడయ్యెను. మన చట్టముల లోపమును ఇంతకంటె స్పష్టముగా చూపు నుదాహరణము వేరొకటి మాకు కనబడుట లేదు. తెల్లవారి పాలనలో మన సొమ్ము సీమకు తరలుచున్నదని వగచితిమి. ఇది స్వరాజ్యమున, మన చట్టముల బలహీనతచేతనే తరలినది.

శిక్షలు పడలేదా యందురు. 2015 ఏప్రిల్ 9వ తేదీన హైదరాబాదు ప్రత్యేక న్యాయస్థానము రాజుగారికిని మరి తొమ్మండుగురికిని ఏడేండ్ల కఠిన శిక్ష విధించెను; మరుసటి నెలలోనే అప్పీలులో శిక్ష నిలుపుదలయై వారు జామీనుపై వెలుపలికి వచ్చిరి. సెబీ 2014లో 1,849 కోట్లను వడ్డీతో గ్రహింప నుత్తరు విచ్చెను. అటుపై అప్పీళ్లు సాగినవి. ఆడిటరు సంస్థలపై సెబీ 2018లో విధించిన రెండేండ్ల నిషేధమును అప్పిలేటు ట్రిబ్యునలు 2019లో కొట్టివేసెను. ఇవన్నియు సర్కారుకును నిందితులకును నడుమ జరిగిన వ్యవహారములు. నష్టపోయినవాడు వీనిలో ప్రేక్షకుడు.

వందేండ్లకు పూర్వము మనవా రింత నిస్సహాయులుగా నుండలేదు. 1906 అక్టోబరులో మద్రాసున ఆర్బత్‌నాట్ కంపెనీ దివాలా తీసెను. అప్పటికి చిత్తూరు జిల్లా యింకను ఏర్పడలేదు. చిత్తూరు ఉత్తరార్కాటునకు ముఖ్యపట్టణము. మన ప్రాంతపు ధనికుల కన్నిటికిని మద్రాసే దిక్కు. దొరల కంపెనీ గదాయని నమ్మి ధనము దాచుకొన్నవారు దేశమంతట వీధిని పడిరి. కాని ఏడ్చి యూరకుండలేదు. సర్ జార్జి ఆర్బత్‌నాట్ దొరకు పదునెనిమిది నెలల కఠిన శిక్ష పడినది, వి. కృష్ణస్వామి అయ్యరు ప్రభృతులు మరుసటి యేడే ఇండియన్ బ్యాంకును నెలకొల్పిరి. ఆ త్రోవనే 1923లో పట్టాభి సీతారామయ్యగారు బందరులో ఆంధ్రా బ్యాంకును స్థాపించిరి. నమ్మిన జనమునకు నమ్మదగిన సంస్థ కావలెనని వారికి తెలియును.

సత్యం తరువాత మన పార్లమెంటును కదలినది. 2013 కంపెనీల చట్టములోని 245వ సెక్షను వాటాదారుల సామూహిక వ్యాజ్యమునకు తలుపు తెరచినది. కంపెనీపైననే గాక డైరెక్టర్లపైనను, తప్పుడు లెక్కలకు ముద్రవేసిన ఆడిటరు సంస్థపైనను పరిహారము కోరవచ్చును. ఎంత చక్కని సెక్షను! కాని అది అమలులోనికి వచ్చుటకు 2016 జూను వరకు పట్టినది. విపణిలోని కంపెనీయైనచో నూరుమంది వాటాదారులు గాని, నూటికి రెండు పాళ్ల వాటా గలవారు గాని చేరవలెనని 2019లో నిర్ణయించిరి. బ్యాంకులకు ఈ సెక్షను వర్తింపదట. ఎందులకో మాకు బోధపడలేదు. ఈ తలుపు తట్టిన ముఖ్య వ్యాజ్యము జిందాల్ పాలీ ఫిల్మ్స్ కంపెనీపై వచ్చినది. అదియు పెరుగుదల మాటలపై గాదు, ఆస్తులు చౌకగా పరులపరము చేసిరను నారోపణపై.

తలుపున్నను గడియ అందనంత ఎత్తుననున్నది. ఇరువది వేల రూపాయల వాటాలున్న తిరుపతి గుమాస్తా యొకడు, తనవంటివారిని తొంబదితొమ్మండుగురిని దేశమంతట వెదకి, ట్రిబ్యునలు ముందు పెద్ద న్యాయవాదులను ఎదుర్కొనవలెను. గెలిచిన సొమ్ములో పాలు పుచ్చుకొని వాదించుట మన న్యాయవాదులకు బార్ కౌన్సిలు నిషేధించినది. అట్టి నిషేధమునకు మంచి కారణములున్నవి, దానిని త్రెంచివేయుమని మేము కోరము. కాని అప్పుడు ఖర్చు పెట్టువాడెవడు? మనవారి సొమ్ముతోనే కోట్లకు కోట్ల వాటాలు కొన్న జీవిత బీమా సంస్థయు, మ్యూచువల్ ఫండులును ముందు నిలువవచ్చును. నూటికి రెండు పాళ్లు వారి కొక లెక్క కాదు. వారు నిలిచిననాడు పరిహారమును కంపెనీ ఖజానానుండి గాక, అబద్ధమాడిన డైరెక్టర్లనుండియు కన్నుమూసికొన్న ఆడిటర్లనుండియు రాబట్టుమని యడుగవలెను. లేనిచో సత్యం వాటాదారునకు పట్టిన గతియే మరల పట్టును.

ఖర్చునకు వేరొక మార్గము చట్టములోనే యున్నది. ఏడేండ్లు ఎవరును వచ్చి అడుగని డివిడెండు సొమ్మంతయు మదుపుదారుల విద్యా రక్షణ నిధి యను ఖజానాకు చేరును. తాత కొన్న వాటాల సంగతి మనుమనికి తెలియక పోయిన సొమ్ము, ఇల్లు మారి చిరునామా తప్పిన సొమ్ము, ఇట్టిదే యందు చాల భాగము. 245వ సెక్షను క్రింద వ్యాజ్యము తెచ్చినవారి ఖర్చులను, ట్రిబ్యునలు అనుమతించినచో, ఈ నిధినుండి తిరిగి యీయవచ్చునని 125వ సెక్షను స్పష్టముగా చెప్పుచున్నది. అది వాటాదారుల సొమ్మే. వ్యాజ్యము ముగిసిన పిదప గాక, వేయుటకు ముందే, విచారణకు తగినదని తోచినవానికి కొంత మొత్తము దానినుండి యీయుటకు సర్కారువారి కడ్డమేమి?