కార్మికుని గుట్టు యజమాని చేతి కర్ర కారాదు



కూలిరేట్లు, బోనసు, భవిష్యనిధి, మూతపడ్డ మిల్లుల బకాయిలు ఇన్ని ఉండగా, ఈ సంచికలో స్వలింగ ప్రేమికుల మాట ఎందుకని కొందరు మిత్రులు అడగవచ్చు. మగవాడు మగవాడిని, ఆడమనిషి ఆడమనిషిని కోరుకోవడం సంఘానికి సంబంధించిన సంగతేనా అని ముఖం చిట్లించవచ్చు. సంబంధించిన సంగతే అని మేము అంటున్నాము. ఎందుకో చరిత్రే చెబుతుంది.

1984 మార్చిలో బ్రిటన్‌లోని ప్రభుత్వ బొగ్గు బోర్డు 20 గనులు మూసి, 20 వేల ఉద్యోగాలు తీసివేయడానికి సిద్ధపడింది. గని కార్మికులు సమ్మె కట్టారు. సమ్మె దాదాపు ఏడాది సాగింది. కోర్టులు యూనియన్ నిధులను జప్తు చేశాయి. ఇళ్ళలో పొయ్యిలో పిల్లి లేవలేదు. 1982 జనవరిలో మొదలైన బొంబాయి మిల్లుల సమ్మెలో పాల్గొన్న రెండున్నర లక్షల మందిలో మన తెలుగువాళ్ళూ ఉన్నారు. ఆ ఆకలి ఎలాంటిదో మన పెద్దలకు వేరే చెప్పనక్కరలేదు.

ఆ కష్టకాలంలో లండన్‌లో కొందరు స్వలింగ ప్రేమికులు డబ్బాలు పట్టుకొని వీధుల్లో చందాలు పోగుచేశారు. మార్క్ ఆష్టన్, మైక్ జాక్సన్ అనే యువకులు చొరవ తీసుకొని 1984 జూలైలో ఒక మద్దతు సంఘం పెట్టారు. పత్రికలు గేలిచేసిన మనుషులూ, పోలీసులు తరిమిన మనుషులూ వీళ్ళే. మమ్మల్ని కొట్టే లాఠీయే గని కార్మికుణ్ణీ కొడుతున్నది, కనుక మనం ఒక్కటి అన్నది వాళ్ళ వాదన. సౌత్ వేల్స్‌లోని డులైస్ లోయ కుటుంబాలను ఆదుకోవడం మొదలుపెట్టారు. 1984 డిసెంబరు 10న లండన్‌లో ఒక సంగీత కచేరీ పెట్టి వేల పౌండ్లు సమకూర్చారు. సమ్మె కుటుంబాల రాకపోకలకు ఒక వ్యాను ఇచ్చారు. మొత్తం మీద ఈ ఒక్క సంఘం 20 వేల పౌండ్లకు పైగా పోగుచేసింది.

గని పల్లెల్లో మొదట గుసగుసలు లేకపోలేదు. కాని అన్నం పెట్టిన చేతిని వాళ్ళు మరవలేదు. ఆ కచేరీలో గని కార్మికుల ప్రతినిధి డై డొనొవాన్ మాట్లాడుతూ, మీరు మా బ్యాడ్జీ పెట్టుకున్నారు, ఇక మీ బ్యాడ్జీ మేము పెట్టుకుంటాము అన్న అర్థం వచ్చేట్టు మాట ఇచ్చాడు. 1985 మార్చిలో సమ్మె ఓడిపోయింది. మాట మాత్రం నిలబడింది. అదే ఏడు జూన్‌లో లండన్‌లో జరిగిన స్వలింగ ప్రేమికుల ఊరేగింపులో గని కార్మికులు తమ జెండాలతో ముందు నడిచారు. ఆ శరదృతువులో లేబర్ పార్టీ మహాసభ స్వలింగ ప్రేమికులకు సమాన హక్కుల తీర్మానం ఆమోదించింది. దాన్ని గట్టెక్కించిన ఓట్లలో గని కార్మికుల యూనియన్ ఓట్లు ముఖ్యమైనవి. మార్క్ ఆష్టన్ 1987 ఫిబ్రవరిలో ఎయిడ్స్‌తో చనిపోయాడు. అప్పటికి అతని వయసు 26 ఏళ్ళు.

ఇది పరదేశపు జాడ్యం, మనకు లేదు అనేవారికి ఒక మాట. పరదేశం నుంచి వచ్చింది కోరిక కాదు, శిక్ష. 1860లో ఆంగ్లేయులు రాసిన శిక్షాస్మృతిలోని 377వ సెక్షను ఈ కోరికను నేరం చేసి, యావజ్జీవ ఖైదు దాకా శిక్ష పెట్టింది. వాళ్ళ దేశంలో 1885లో వచ్చిన మరో చట్టానికి జనం పెట్టుకున్న పేరు బెదిరింపుగాళ్ళ హక్కుపత్రం. ఎవడికి గుట్టు తెలిస్తే వాడు డబ్బు గుంజేవాడు. రెండో ప్రపంచ యుద్ధంలో జర్మనీ రహస్య సంకేతాలను ఛేదించిన ఆలన్ ట్యూరింగ్‌కే ఆ చట్టం కింద 1952లో శిక్ష పడింది. అంతటివాడికే దిక్కులేనప్పుడు ఓడరేవు కూలీ గతి ఏమిటి? ఇంగ్లండ్, వేల్స్‌లలో 1967లో చట్టం కొంత సడలింది. మన దేశంలో సుప్రీంకోర్టు 2018 సెప్టెంబరు 6న గాని వయోజనుల ఇష్టపూర్వక సంబంధం నేరం కాదని తేల్చలేదు.

ఇది డబ్బున్నవాళ్ళ విషయం అనేవారికి ఇంకో మాట. డబ్బున్నవాడికి తలుపు ఉంది, గడియ ఉంది. ఒక్క ఖోలీలో పదిమంది పాళీల వారీగా పడుకునే కార్మికుడికి ఏమున్నది? 1987లో మధ్యప్రదేశ్‌లో ఇద్దరు మహిళా కానిస్టేబుళ్ళు ఒకరినొకరు పెళ్ళి చేసుకుంటే ఉద్యోగాలు ఊడబెరికారు. వాళ్ళు పొట్టకూటికి పనిచేసే జీతగత్తెలే. 1991లో ఎయిడ్స్ భేద్‌భావ్ విరోధీ ఆందోళన్ ఈ బాధలన్నిటిపై ఢిల్లీలో నివేదిక వెలువరించేదాకా వాటిని బహిరంగంగా పట్టించుకున్నవారు బహు కొద్దిమంది.

అసలు సంగతి ఇక్కడున్నది. ముకద్దంకో సూపర్‌వైజరుకో కార్మికుని గుట్టు తెలిసిందనుకోండి. ఊళ్ళో చెబుతా, ఇంట్లో చెబుతా అన్న ఒక్క మాట చాలు. ఆ మనిషి రాత్రిపాళీ కాదనలేడు, తక్కువ కూలి కాదనలేడు, సమ్మె నాడు గేటు బయట నిలబడలేడు. అటువంటి ఒక్క కార్మికుడు చాలు, యజమాని మన ఐక్యతకు గండి కొట్టడానికి. ఆ కర్రకు బలం యజమాని ఇచ్చింది కాదు. మనం చేసే ఎగతాళే దానికి బలం. మనం నవ్వడం మానితే కర్ర విరుగుతుంది.

అందుకని రానున్న మహాసభ ముందు మూడు ప్రతిపాదనలు పెడుతున్నాము. ఒకటి, ఈ కారణంగా ఏ కార్మికుణ్ణి పని నుంచి తీసినా, వేధించినా, సంఘం దాన్ని మిగతా అక్రమ తొలగింపుల లాగానే పట్టించుకొని పోరాడాలి. రెండు, సభ్యుని గుట్టును రచ్చకీడ్చిన కార్యకర్త ఎవరైనా సంజాయిషీ చెప్పుకోవాలి. మూడు, సుప్రీంకోర్టు 2023 అక్టోబరులో ఇలాంటి జంటల పెళ్ళికి చట్టబద్ధత ఇవ్వడానికి నిరాకరించింది. 1952 నాటి భవిష్యనిధి పథకం చెప్పిన కుటుంబంలో స్నేహితునికి చోటు లేదు. ఆ నిర్వచనం ప్రకారం కుటుంబం లేని సభ్యుడు మాత్రం తాను కోరినవారిని నామినీగా రాసుకోవచ్చు. ఇరవై ఏళ్ళు కలిసి బతికిన మనిషి చివరికి ఉత్త చేతులతో మిగలకుండా, ఆ పత్రాలు సరిగా నింపడానికి మన ఆఫీసు తోడ్పడాలి.

మనసొప్పనివారు మహాసభకు వచ్చి తమ మాట చెప్పండి, వింటాము. కాని చందా పుస్తకంలో పేరున్న ప్రతి సభ్యుడూ మనవాడే, ప్రతి సభ్యురాలూ మన ఆడపడుచే. రసీదు చింపి ఇచ్చేటప్పుడు, ఎవరిని ప్రేమిస్తున్నావని మనం ఏనాడూ అడగలేదు. కష్టం వచ్చిన నాడు మాత్రం ఎందుకు అడగాలి?