‘ఇంకో మూడు టన్నులు వెయ్యి’ అంటే?

డిగ్రీ చేతికొచ్చింది. చల్లపల్లి దగ్గర ఓ రైసుమిల్లులోనో, విజయవాడ ఆటోనగర్‌లో ఓ ట్రాన్స్‌పోర్ట్ ఆఫీసులోనో లోడింగ్ చూసుకునే ఉద్యోగం దొరికిందనుకోండి. మొదటి వారమే యజమాని ‘‘ఇంకో మూడు టన్నులు వెయ్యి, పర్మిషన్ సంగతి నేను చూసుకుంటా’’ అంటే ఏం చేస్తారు?

ముందు ఒకటి తెలుసుకోండి. పరిమితి దాటిన లోడుకు ప్రత్యేక అనుమతి ఇచ్చేది విడదీయడానికి వీల్లేని వస్తువులకే. పెద్ద ట్రాన్స్‌ఫార్మర్, బాయిలర్, గాలిమర రెక్క లాంటివన్నమాట. ధాన్యం, ఇసుక, కంకర రెండో లారీలో వేయొచ్చు. కాబట్టి వాటికి ఆ వెసులుబాటు లేదు.

ట్రాన్స్‌ఫార్మర్‌కైనా అనుమతి ఊరికే రాదు. చల్లపల్లి మీదుగా పోయే 216వ నంబరు జాతీయ రహదారినే తీసుకోండి. బరువు ఎన్ని ఇరుసుల మీద పడుతోంది, పులిగడ్డ వంతెన దాన్ని మోయగలదా, కరెంటు తీగలు తగులుతాయా, మలుపు తిరుగుతుందా అన్నీ ముందే చూసుకోవాలి.

ఇక జరిమానా. మోటారు వాహనాల చట్టం 194వ సెక్షన్‌ను 2019లో సవరించారు. అధిక బరువుకు రూ.20,000, ఆపైన అదనపు టన్నుకు రూ.2,000 చొప్పున కట్టాలి. మూడు టన్నులకు రూ.26,000. దించే ఖర్చు వేరే. ఇది డ్రైవరుకే కాదు, బండిని అలా నడిపించినవారికీ, నడపనిచ్చినవారికీ వర్తిస్తుంది. అంటే లోడింగ్ దగ్గర నిలబడ్డ మీకూ బాధ్యత తప్పకపోవచ్చు.

రోడ్డు సంగతీ ఆలోచించండి. ఇరుసు బరువు 20 శాతం పెరిగితే రోడ్డుకు తగిలే దెబ్బ దాదాపు రెట్టింపవుతుందని ఇంజినీర్ల లెక్క. మన డెల్టా నల్లరేగడి మీద వేసిన రోడ్ల గతి మీకు చెప్పక్కర్లేదు.

ఈ లెక్కలు తెలిసినవాళ్లకు పనుంది. సివిల్ వాళ్లకు వంతెనల పరిశీలన, ఏ డిగ్రీ వాళ్లకైనా భారీ రవాణా కంపెనీల్లో రూట్ సర్వే, అనుమతుల పని. మెకానికల్, ఆటోమొబైల్ వాళ్లకు ఏఎంవీఐ పోస్టులున్నాయి. వాటికి హెవీ లైసెన్సు కూడా అడుగుతారు. రవాణా వాహనం లైసెన్సుకు 20 ఏళ్లు నిండాలి, అంతకుముందు ఏడాదిపాటు లైట్ వాహనం లైసెన్సు ఉండాలి. నోటిఫికేషన్ వచ్చాక పరుగెత్తితే అందదు, ఇప్పుడే మొదలెట్టండి.

యజమానితో గొడవొద్దు. కాటా చీటీ ముందుపెట్టి, ‘‘సార్, జరిమానా ఇంత. రెండో లారీ కిరాయి ఎంతవుతుందో చూద్దాం’’ అనండి. వినకపోతే ఆ చీటీ మీద సంతకం మాత్రం పెట్టకండి.