తాళం, స్టాకు, డ్రమ్ము

‘లాక్, స్టాక్ అండ్ బ్యారెల్’ అనే ఆంగ్ల నుడికారాన్ని మన పాఠకులలో చాలామంది వినే ఉంటారు. ఏదీ మినహాయించకుండా సమస్తమూ అని దాని భావం. ఫలానా వ్యాపారి తన దుకాణాన్ని ఈ విధంగా అమ్మివేశాడని, ఫలానా కుటుంబం ఈ విధంగా ఊరు విడిచి వెళ్ళిపోయిందని ఆంగ్ల పత్రికలు వ్రాస్తుంటాయి. ఈ మూడు మాటల మూలంగా మా బస్తీలో ఒక ఇంటి విక్రయం రద్దయ్యేంత వరకు వెళ్ళింది. అందుచేత ఈ నెల ఈ శీర్షికను అరబీ పదానికి గాక ఒక ఆంగ్ల పదబంధానికి కేటాయిస్తున్నాను. నా ఆంగ్ల పాండిత్యం ఎంతటిదో నా శిష్యులకు బాగా తెలుసు. నిఘంటువు ముందు పెట్టుకొనే వ్రాస్తున్నాను.

జరిగినది ఇది. తండ్రి మరణించిన తరువాత ఇద్దరు అన్నదమ్ములు, ఒక సోదరి కలిసి పెద్దల ఇంటిని అమ్మదలచారు. తల్లి అంతకు ముందే అల్లాహ్ సన్నిధికి చేరుకున్నది. సోదరి వితంతువు, ఆ ఇంటి ముందు గదిలోనే ఉంటూ కుట్టుపని చేసుకొని జీవిస్తున్నది. కొనుగోలుదారు పరాయివాడు కాడు, మా జమాఅత్‌లో నమాజుకు వచ్చే మనిషే. ఒప్పందపత్రాన్ని సౌదీలో ఉద్యోగం చేస్తున్న చిన్న తమ్ముడు ఆంగ్లంలో తయారుచేసి పంపాడు. అందులో ‘షాబాన్ నెలాఖరులోగా ఇంటిని లాక్, స్టాక్ అండ్ బ్యారెల్ అప్పగించగలము’ అని ఒక వాక్యం ఉన్నది. ఆ వాక్యం చూడడానికి అందంగా ఉన్నదని అందరూ సంతకాలు చేశారు. గడువు రోజున కొనుగోలుదారు వచ్చి, సామాను లోపల ఉండగానే తలుపుకు తన తాళం వేసుకొని వెళ్ళిపోయాడు. సోదరి కుట్టుమిషను లోపలే ఉండిపోయింది.

ఆ రాత్రి ఇషా నమాజు తరువాత వారంతా మసీదు వరండాలో నా చుట్టూ కూర్చున్నారు. ఒక్కొక్కరు ఆ వాక్యానికి చెప్పిన అర్థం వింటే నవ్వు ఆపుకోవడం కష్టమయింది. పెద్దన్న అన్నాడు: “హజ్రత్, లాక్ అంటే తాళం. ఇంటికి తాళం వేసి తాళంచెవి ఇస్తామనే కదా వ్రాసింది?” కొనుగోలుదారు ఒప్పుకోలేదు: “స్టాక్ అని కూడా ఉన్నది కదా హజ్రత్. స్టాకంటే లోపలి సరుకంతా అనేగా?” ఆయన వెంట వచ్చిన బావమరిది మరొక అడుగు ముందుకు వేసి, పెరట్లోని నీలిరంగు నీళ్ళ డ్రమ్మే బ్యారెల్ అని, దానిని పేరుపెట్టి మరీ వ్రాశారని వాదించాడు.

ముగ్గురి మాటా సరికాదు. ఈ నుడికారంలో తాళమూ లేదు, సరుకూ లేదు, డ్రమ్మూ లేదు. ఇది తుపాకీకి సంబంధించినది. పాతకాలపు తుపాకీలో ప్రధాన భాగాలు మూడు. మందుకు నిప్పు రాజేసే యంత్రభాగాన్ని ఆంగ్లేయులు లాక్ అన్నారు. భుజానికి ఆనించి పట్టుకొనే కొయ్యభాగం స్టాక్. గుండు దూసుకుపోయే ఇనుప గొట్టం బ్యారెల్. ఈ మూడూ కలిస్తే తుపాకీ మొత్తం అయినట్లే. ఆ విధంగా ఒక ఆయుధపు అవయవాల పట్టిక క్రమంగా ‘మొత్తం’ అనే అర్థంలో స్థిరపడింది. పందొమ్మిదవ శతాబ్దపు తొలినాళ్ళకే ఈ వాడుక ఉన్నది. ఈనాడు దానిని పలికేవారికి తుపాకీ జ్ఞాపకమైనా రాదు.

వాడుకలో రెండు సంగతులు గమనించదగినవి. దీనిని సాధారణంగా అమ్మడం, అప్పగించడం, తరలించడం వంటి క్రియల పక్కన వాడతారు. ఇటువంటివి ఆంగ్లంలో మరికొన్ని ఉన్నాయి గాని ఒకదాని చోట మరొకటి నప్పదు. మోసగాని మాటలను పూర్తిగా నమ్మి బోల్తాపడినవాని గురించి ‘హుక్, లైన్ అండ్ సింకర్’ అంటారు. గాలాన్నీ, దారాన్నీ, దారానికి కట్టిన సీసపు బరువునూ కలిపి మింగిన చేప అన్నమాట. ఒక దురాచారాన్నో వ్యవస్థనో పూర్తిగా తొలగించాలన్నప్పుడు ‘రూట్ అండ్ బ్రాంచ్’ అంటారు. 1640లో లండన్ ప్రజలు చర్చిలో బిషప్పుల అధికారాన్ని సమూలంగా రద్దు చేయాలని పార్లమెంటుకు సమర్పించిన విన్నపం చరిత్రలో ఈ పేరుతోనే ప్రసిద్ధమయింది. మన తెలుగులో ‘కూకటివేళ్ళతో’ అనే మాట సరిగ్గా ఇటువంటిదే. ఇక ‘బ్యాగ్ అండ్ బ్యాగేజ్’కు మన ‘తట్టాబుట్టా’ ఉండనే ఉన్నది. అయితే తట్టాబుట్టా సర్దుకోవడంలో కొంత చులకన ధ్వనిస్తుంది. గౌరవనీయులైన అతిథుల గురించి ఎవరూ అలా అనరు.

మరి లాక్, స్టాక్ అండ్ బ్యారెల్‌కు తెలుగు ఏమిటి? ‘గుండుగుత్తగా’ అన్నది నాకు దగ్గరగా తోస్తున్నది. విడివిడిగా లెక్కించకుండా అంతా ఒకే మొత్తంగా అనే భావం అందులో ఉన్నది. దస్తావేజుల భాషలో మన పెద్దలు ఇంతకంటె గంభీరమైన మాటలే వాడారు. పాత విక్రయ పత్రాలను చూచినవారికి ‘అష్టభోగాలు’ అనే మాట పరిచితమే: నిధి, నిక్షేపం, జలం, పాషాణం, అక్షీణి, ఆగామి, సిద్ధం, సాధ్యం. భూమిలో దాగి ఉన్న ధనం మొదలుకొని భవిష్యత్తులో రాబోయే లాభం వరకు ఎనిమిదింటిని పేర్కొనేవారు. తుపాకీకి మూడు భాగాలు చాలాయి. మన భూమికి ఎనిమిది కావలసివచ్చాయి. కాని ఈ ఎనిమిదింటిలోనూ కుట్టుమిషను లేదన్న సంగతిని గమనించండి. అవన్నీ భూమికి సంబంధించిన భోగాలే.

ఆ రాత్రి నేను వారికి వినిపించినది నిఘంటువులోని మాట కాదు, మన మదరసాలలో బోధించే హిదాయా గ్రంథంలోని మాట. ఇమామ్ మర్గీనానీ (రహ్మ) హిజ్రీ 593లో, అనగా క్రీస్తుశకం 1197లో పరమపదించారు. క్రయవిక్రయాల ప్రకరణంలో వారు ఈ సమస్యనే చర్చించారు. ఇంటిని అమ్మినవాడు కట్టడాన్ని విడిగా పేర్కొనకపోయినా కట్టడం విక్రయంలో చేరుతుంది. భూమిని అమ్మితే అందులోని చెట్లు చేరుతాయి. పైరు మాత్రం పేర్కొంటేనే చేరుతుంది. చెట్టు మీది కాయలు, కొనేవాడు షరతు పెట్టుకుంటే తప్ప, అమ్మినవానివే. దైవప్రవక్త ముహమ్మద్ (సఅసం) పుప్పొడి అద్దిన ఖర్జూర చెట్ల విషయంలో ఈ విధంగానే తీర్పు చెప్పినట్లు హజ్రత్ అబ్దుల్లాహ్ బిన్ ఉమర్ (రజి) ఉల్లేఖించిన హదీసు బుఖారీ, ముస్లిం గ్రంథాలలో ఉన్నది.

తాళం సంగతి మరింత ఆసక్తికరం. తలుపుకు బిగించి ఉన్న తాళం విక్రయంలో చేరుతుంది, ఎందుకంటే అది అక్కడ స్థిరంగా ఉండడానికే అమర్చబడింది. దాని తాళంచెవి కూడా పేర్కొనకుండానే చేరుతుంది. చెవి లేని తాళం వల్ల ప్రయోజనం లేదు గనుక అది తాళంలో భాగం వంటిది. విడిగా తగిలించి తీసే తాళంకప్ప మాత్రం చేరదని ధర్మవేత్తలు వివరించారు. ఇది విని పెద్దన్న, “అయితే మా నాన్నగారి అలీగఢ్ తాళంకప్ప మాదే!” అన్నాడు. నిజమే, వారిదే. ఈ మాటతో కొనుగోలుదారు ముఖం కొంచెం చిన్నబోయింది.

మన దేశపు చట్టమూ ఈ విషయంలో దూరంగా లేదు. 1882 నాటి ఆస్తి బదిలీ చట్టంలోని 8వ సెక్షను ప్రకారం, వేరే ఉద్దేశం వ్యక్తం కానప్పుడు, ఇల్లు బదిలీ అయితే దానితోపాటు తాళాలు, తాళంచెవులు, గడియకమ్ములు, తలుపులు, కిటికీలు, శాశ్వత వినియోగానికై ఏర్పాటు చేసిన ఇతర వస్తువులు బదిలీ అవుతాయి. బీరువాలు, మంచాలు, వంటపాత్రలు ఆ జాబితాలో లేవు. బోరుకు బిగించిన మోటారు ఇంటితో పోతుందని అందరూ ఒప్పుకున్నారు. డ్రమ్ము పోదు.

కాని అసలు చిక్కు ఇక్కడే ఉన్నది. ఒప్పందంలో ‘ఇల్లు’ అని మాత్రమే వ్రాసి ఉంటే పైన చెప్పినది సరిపోయేది. వ్రాసినది ‘సమస్తమూ’ అన్న అర్థమిచ్చే మాట. అరబీ దస్తావేజులలోనూ అటువంటి మాట ఉన్నది: ‘బి కుల్లి ఖలీలిన్ వ కసీర్’, అనగా అందులోనిదీ దాని నుండి వచ్చేదీ, కొంచెమైనా ఎక్కువైనా, అంతా. ఈ మాట వ్రాసి, దానిని ‘ఇంటి హక్కులలోనివి’ అనే మాటతో పరిమితం చేయకపోతే, చెట్టు మీది కాయలూ నేల మీది పైరూ కూడా చేరుతాయని హిదాయా చెబుతున్నది. అంత విశాలమైన మాట వ్రాసినా, కోసి పెట్టిన కాయలూ నూర్చిన ధాన్యమూ మాత్రం విడిగా పేరు చెబితేనే చేరుతాయి. అంటే ‘సమస్తం’ అన్న మాటకు కూడా ఒక గట్టు ఉన్నది.

దివ్య ఖుర్ఆన్ చదివేవారికి ఇది కొత్త కాదు. ఆద్ జాతిపై వచ్చిన గాలి ప్రతి వస్తువునూ నాశనం చేస్తుందని అహ్‌ఖాఫ్ సూరాలో ఉన్నది. వెనువెంటనే, తెల్లవారేసరికి వారి నివాసాలు తప్ప మరేమీ కనిపించలేదనీ ఉన్నది. నివాసాలు మిగిలాయి కదా! సబా రాణికి ప్రతి వస్తువూ ప్రసాదించబడిందని నమ్ల్ సూరాలో హుద్‌హుద్ పక్షి చెప్పింది. హజ్రత్ సులైమాన్ (అలైహిస్సలాం) వద్ద ఉన్నది ఆమె వద్ద లేదు. ‘కుల్లు’ అన్న పదం సందర్భాన్ని బట్టి తన హద్దును తానే ఏర్పరచుకుంటుందని విద్యార్థులకు ఉసూల్ పాఠంలో ఈ ఉదాహరణలతోనే చెబుతాము. పాఠం చెప్పినప్పుడు తల ఊపే పిల్లలు ఒప్పందాలు వ్రాసేటప్పుడు దానిని మరచిపోతారు. చిన్న తమ్ముడు కూడా నా దగ్గర రెండేళ్ళు చదివినవాడే.

నేను మొట్టమొదట అడిగినది వేరొక ప్రశ్న: “ఆపాకు ఇంటి ధరలో వాటా ఇచ్చారా?” ఇచ్చారు. ఇద్దరు కుమారులు, ఒక కుమార్తె ఉంటే ఆమెకు అయిదింట ఒక వంతు. ఆ లెక్క పత్రంలో సక్రమంగానే ఉన్నది. అల్‌హందులిల్లాహ్. రెండవ ప్రశ్న: “మిషను ఎవరిది?” ఆమె స్వయంగా కొనుక్కున్నది. స్టీలు బీరువా ఆమె పెండ్లినాడు పుట్టింటివారు ఆమెకిచ్చినది, అదీ ఆమెదే. పత్రం మీద ఆమె సంతకం ఉన్న మాట నిజమే. కాని అది ఇంటిలో తన వాటాకు పెట్టిన సంతకమే గాని తన మిషనుకు పెట్టినది కాదని ఆమె చెప్పింది; ఆమెతో మిషను బేరం ఎన్నడూ చేయలేదని కొనుగోలుదారూ అంగీకరించాడు. తమ వద్ద లేనిదానిని అమ్మవద్దని దైవప్రవక్త (సఅసం) హకీమ్ బిన్ హిజామ్ (రజి)కు ఉపదేశించారు. పరుల వస్తువును యజమాని అనుమతి లేకుండా అమ్మితే ఆ విక్రయం యజమాని ఆమోదంపైనే ఆధారపడి ఉంటుంది. ఆమె ఆమోదించలేదు. ఇక ఆ ఇంట్లో ఒక మూల మసీదుకు చెందిన సిపారాల పెట్టె, వలీమా నిమిత్తం తెచ్చి తిరిగి ఇవ్వని పెద్ద దేగు ఉన్నాయి. వక్ఫు సొమ్మును ఏ భాషలో వ్రాసినా ఎవరూ అమ్మజాలరు. దేగు ఏడాదిగా ఎక్కడ ఉన్నదో మా కమిటీకి ఆ రాత్రే తెలిసింది.

మిగిలినవి తండ్రిగారి ఇనప్పెట్టె, ఉయ్యాలబల్ల, పుస్తకాల అల్మారా, రెండు కొబ్బరిచెట్ల మీది కాయలు. ఇవి వారసుల ఉమ్మడి సొత్తు, కనుక వీటి విషయంలో వివాదానికి చోటున్నది. వాడుక న్యాయనిర్ణేత అవుతుందన్నది ఫిఖహ్ సూత్రం. ఉస్మానియా ఖిలాఫత్ కాలపు మజల్లాలో అది 36వ నిబంధన. అయితే ఎవరి వాడుక? ఆ మాట లండన్ వాడుకలో ఉన్నది, మా బస్తీ వాడుకలో లేదు. అమ్మేవారూ కొనేవారూ దేనిని అమ్మారన్న విషయంలోనే విభేదించి, ఇరువైపులా సాక్ష్యం లేకపోతే, ఇద్దరిచేతా ప్రమాణం చేయించి ఖాజీ విక్రయాన్ని రద్దు చేస్తాడని గ్రంథాలు చెబుతున్నాయి. ఈ సంగతి చెప్పేసరికి వరండా నిశ్శబ్దమయింది. అన్నగారు బయానా సొమ్మును కుమార్తె నికాహ్‌కు ఖర్చు చేసి ఉన్నాడు. కొనుగోలుదారు తన పాత ఇంటిని ఖాళీ చేసి ఉన్నాడు. అల్లాహ్ పేరిట ప్రమాణం చేయడానికి ఇద్దరూ ముందుకు రాలేదు. వారి భయభక్తులను నేను మెచ్చుకుంటాను.

సంధి కుదిరింది. కాయలు కొనుగోలుదారునికి, తండ్రిగారి పుస్తకాలు, పెట్టె, ఉయ్యాలబల్ల పిల్లలకు. అరువు వ్యవహారాన్ని వ్రాసి పెట్టుకోవాలని ఆదేశించే ఆయతు ఖుర్ఆన్‌లోకెల్లా పెద్దది. ఆ సంగతి గుర్తు చేసి, మా హిఫ్జ్ విద్యార్థి చేత అక్కడే తెల్లకాగితం మీద తెలుగులో ఒక జాబితా వ్రాయించాము. సోదరి చెబుతూ ఉంటే వాడు వ్రాశాడు: కుట్టుమిషను, దాని స్టూలు, బీరువా, రాగి బిందె, రెండు పరుపులు, ఖుర్ఆన్ రెహాల్... నలభై ఒకటి దాకా వచ్చింది. మరునాడు ఫజ్ర్ తరువాత కొనుగోలుదారే తన తాళం తీసి మిషనును స్వయంగా ఆటోలో ఎక్కించాడు.

నీలిరంగు డ్రమ్మును జాబితాలో ఇరువైపులా వ్రాయలేదు. అది ఇప్పుడు మసీదు వుజూఖానా పక్కన ఉన్నది.