పణం లేని వాదం: పోప్ రెండవ జాన్ పాల్ విశ్వయాత్రలపై ఒక విచారణ

శ్రీగురుభ్యో నమః

1999 నవంబరు 7 దీపావళి పర్వదినం. ఆనాడు ఢిల్లీలోని జవహర్‌లాల్ నెహ్రూ క్రీడాప్రాంగణంలో, కంపవాతంతో చేతులు వణుకుతున్న డెబ్బై తొమ్మిదేళ్ల వృద్ధుడొకరు వేలాది విశ్వాసుల మధ్య దివ్యబలిపూజ జరిపారు. ఆయన కతోలిక శ్రీసభకు అధిపతి, పోప్ రెండవ జాన్ పాల్. అంతకు ముందురోజు అదే నగరంలో ఆయన ‘ఎక్లేసియా ఇన్ ఏషియా’ అనే ఉపదేశపత్రంపై సంతకం చేశారు. అందులోని ఆశయం సుస్పష్టం. ప్రథమ సహస్రాబ్దిలో ఐరోపా గడ్డపైనా, ద్వితీయ సహస్రాబ్దిలో అమెరికా, ఆఫ్రికా ఖండాలలోనూ శిలువ నాటుకొన్నట్లే, తృతీయ సహస్రాబ్దిలో ఆసియాఖండంలో విశ్వాసపు మహాసస్యం చేతికి రావాలని ఆ పత్రం ఆకాంక్షించింది.

దీపాలు వెలుగుతున్న ఇంటికి అతిథిగా వచ్చినవారు ఆ ఇంటి సంస్కృతిని ప్రశంసించారు. ఆ ఇల్లు తమ పంటపొలమని కూడ ప్రకటించారు. ప్రశంస, పంట అనే ఈ రెండు మాటలు ఒకే హృదయంలో ఎట్లు పొసగుతాయి? ద్వేషానికి తావీయకుండా, మొగమాటానికి లొంగకుండా జిజ్ఞాసువు పరిశీలించవలసిన ప్రశ్న ఇది.

ముందుగా ఆ యాత్రల పరిమాణం తెలియాలి. 1978 అక్టోబరు 16న ఎన్నికైన నాటి నుండి 2005 ఏప్రిల్ 2న పరమపదించే వరకు ఆయన ఇటలీ వెలుపల 104 యాత్రలు చేశారు. 129 దేశాలు దర్శించారు. పదకొండు లక్షల కిలోమీటర్లకు పైగా సంచరించారు. అంతకు పూర్వం ఆరవ పాల్ 1964 డిసెంబరులో బొంబాయికి వచ్చి, భారతభూమిపై అడుగిడిన మొదటి పోప్ అయినారు. బృహదారణ్యకోపనిషత్తులో అసత్తు నుండి సత్తుకు నడిపించుమని వేడుకొనే ప్రార్థనను ఆయన తన ప్రసంగంలో సగౌరవంగా ఉదాహరించారు. ఆ బాటను రాజమార్గంగా విస్తరింపజేసినవారు రెండవ జాన్ పాల్.

ఆ యాత్రలలోని మహనీయతను కాదనడం అధర్మం. 1979 జూన్‌లో మాతృభూమి అయిన పోలండులో ఆయన చేసిన పర్యటన నిరంకుశపాలనలో నలుగుతున్న ప్రజలకు ప్రాణవాయువు వంటిది. 1992లో ఆయన సెనెగల్ తీరంలోని గోరే ద్వీపంలో, ఆఫ్రికన్లను బానిసలుగా ఓడలకెక్కించిన చోట నిలిచి, క్రైస్తవులు చేసిన ఆ పాపానికి క్షమాపణ వేడుకొన్నారు. 2000లో జెరూసలేములో యూదుల పశ్చిమకుడ్యం ముందు శిరసు వంచారు. 2001లో ఏథెన్సులో, 1204 నాటి కాన్‌స్టాంటినోపుల్ విధ్వంసానికి పశ్చాత్తాపం ప్రకటించారు. అదే యాత్రలో డమాస్కసు నగరపు ఉమయ్యద్ మసీదులో అడుగుపెట్టి, మసీదులో ప్రవేశించిన తొలి పోప్ అయినారు. 1986 ఫిబ్రవరి 1న భారతదేశానికి వచ్చినప్పుడు మొట్టమొదటనే రాజఘాట్‌కు వెళ్లి గాంధీజీకి అంజలి ఘటించారు. తరువాత కలకత్తాలో కాళీఘట్టం చెంత ఉన్న మదర్ థెరెసా నిర్మల్ హృదయ్‌లో మరణోన్ముఖులకు స్వహస్తాలతో అన్నం తినిపించారు. వార్ధక్యం, వ్యాధి, 1981లో శరీరంలో దిగిన తుపాకిగుండ్లు, ఏవీ ఆయన పాదాలను ఆపలేదు. ఈ తపస్సుకు నమస్కరింపవలసినదే.

అయితే తపస్సుకు నమస్కరించడం వేరు, సిద్ధాంతాన్ని అంగీకరించడం వేరు. పూర్వపక్షాన్ని యథాతథంగా గ్రహించడం శాస్త్రమర్యాద. కనుక శ్రీసభ స్వీయవాక్యాలనే చూడాలి. 1965లో రెండవ వాటికన్ మహాసభ ‘నోస్త్రా ఏతాతే’ అనే ప్రకటనలో హిందూమతాన్ని పేరుపెట్టి పేర్కొని, అన్యమతాలలోని సత్యమైన, పవిత్రమైన అంశాలను దేనినీ తాము తిరస్కరించబోమని తెలిపింది. దానినే హిందువులు పదే పదే స్మరిస్తారు. కాని 1990లో రెండవ జాన్ పాలే వెలువరించిన ‘రెదెంప్తోరిస్ మిస్సియో’ మతసంవాదం కూడ సువార్తాప్రచారకార్యంలో ఒక భాగమేనని చెప్పింది. 2000లో ఆయన ఆమోదంతో వెలువడిన ‘దోమినుస్ యేసుస్’ అన్యమతస్థులు మోక్షవిషయంలో తీవ్రమైన లోటుతో ఉన్నారని తీర్మానించింది. అంటే అతిథి ప్రశంస అబద్ధం కాదు. అది అసంపూర్ణమైనదానికి లభించే ప్రశంస. మొలకను చూచి రైతు ఆనందిస్తాడు. ఆ ఆనందం కోతకాలాన్ని ఉద్దేశించినది.

ఇక్కడనే న్యాయశాస్త్రం సహాయానికి వస్తుంది. గౌతమమహర్షి సంప్రదాయం శాస్త్రచర్చను మూడుగా విభజించింది. సత్యనిర్ణయం కోసం చేసేది వాదం. గెలుపుకోసం చేసేది జల్పం. స్వపక్షం స్థాపించకుండా పరపక్షాన్ని మాత్రమే ఖండించేది వితండ. వాదంలో ఇరుపక్షాలు కూడ తాము పొరబడి ఉండవచ్చునన్న అవకాశాన్ని అంగీకరించి కూర్చుంటాయి. నిర్ణయం ముందే సిద్ధమై, అన్యుని మార్పు మాత్రమే మిగిలి ఉన్న సంభాషణకు వాదమనే పేరు చెల్లదు. దానిని ఉపదేశమనవచ్చు. ఉపదేశం తప్పు కాదు. కాని గీతలో భగవానుడు జ్ఞానోపదేశానికి ప్రణిపాతం, పరిప్రశ్న, సేవ అనే మూడింటిని పూర్వాంగాలుగా చెప్పాడు. ప్రశ్నించని వానికి సమాధానం చెప్పడమే కాక, ఆ సమాధానానికి సంవాదమని నామకరణం చేయడం దగ్గరనే అసలు అభ్యంతరం.

దీనికి ప్రత్యాక్షేపం ఒకటి సిద్ధంగా ఉంటుంది. ఆదిశంకరులు దిగ్విజయయాత్ర చేయలేదా? ఆసేతుహిమాచలం సంచరించి పరమతాలను ఖండించలేదా? తెలుగు కతోలికులు పోప్‌ను కూడ జగద్గురువనే వ్యవహరిస్తారు. ఒక జగద్గురువుకు ఒప్పినది మరొక జగద్గురువుకు ఎందుకు తప్పు కావాలి? ఈ ఆక్షేపం బలమైనది. శంకరులు కూడ గెలవడానికే వెళ్లారు, ఇతర మతాలు అసంపూర్ణమనే భావించారు. దానిని దాచిపెట్టి, హిందువులు ఎన్నడూ ఎవరినీ ఖండించలేదని చెప్పడం ఆత్మవంచన.

భేదం మరొక చోట ఉంది. మండనమిశ్రునితో శంకరుల వాదాన్ని శంకరవిజయాలు ఎట్లు వర్ణించాయి? వాదారంభానికి ముందు పణం నిర్ణయమైంది. మండనుడు ఓడితే సన్న్యసించాలి. శంకరులు ఓడితే కాషాయం విడిచి గృహస్థుడు కావాలి. న్యాయనిర్ణేత ఎవరు? ప్రత్యర్థి ధర్మపత్ని ఉభయభారతి. ఈ కథ చారిత్రకత ఎంత అన్నది ఇక్కడ ప్రధానం కాదు. ఒక సంప్రదాయం తన ఆచార్యుని ఔన్నత్యాన్ని ఏ కొలతతో కొలిచిందో అది తెలుపుతుంది. పరుని పీఠాన్ని కోరినవాడు తన పీఠాన్ని కూడ పణంగా పెట్టాడు. 104 యాత్రలలో, 129 దేశాలలో, ఏ వేదికపైనైనా ఇట్టి పణం కనిపిస్తుందా? 1986లో మదరాసులో మతప్రతినిధులతో సమావేశం జరిగింది. అదే సంవత్సరం అక్టోబరు 27న అస్సీసీలో సర్వమతప్రార్థనాదినం జరిగింది. 1999లో ఢిల్లీ విజ్ఞానభవనంలో మరొక సమావేశం జరిగింది. అన్ని చోట్లా మర్యాద ఉన్నది, శాంతివచనం ఉన్నది. తమ సిద్ధాంతమే పరీక్షకు నిలిచే ఘట్టం మాత్రం ఏ కార్యక్రమపట్టికలోను లేదు.

1995 జనవరిలో కొలంబోలో దీని ఫలం ప్రత్యక్షమైంది. అంతకు ముందు సంవత్సరం వెలువడిన తన గ్రంథంలో పోప్ బౌద్ధుల నిర్వాణమార్గాన్ని కేవలం లోకవిముఖమైనదిగా చిత్రించారు. బౌద్ధాచార్యులు మనస్తాపం చెంది ఆయనతో సమావేశాన్ని బహిష్కరించారు. గ్రంథంలో నిర్ణయం ముగిసిన తరువాత సభలో సంవాదానికి మిగిలినదేమిటని వారి మౌనం ప్రశ్నించింది.

రెండవ ప్రత్యాక్షేపం ఇంకా సూక్ష్మమైనది. అన్యదేవతలను శ్రద్ధతో కొలిచేవారు కూడ తననే కొలుస్తున్నారని గీతాచార్యుడు తొమ్మిదవ అధ్యాయంలో చెప్పాడు. విధిపూర్వకంగా కాదనే మాట కూడ చేర్చాడు. ఇది కూడ అన్యమతాన్ని తనలో కలుపుకోవడమే కదా? అవును, కలుపుకోవడమే. కాని ఏడవ అధ్యాయాన్ని కూడ తోడుగా చదవాలి. ఏ భక్తుడు ఏ మూర్తిని అర్చింపగోరుతాడో, వానికి ఆ మూర్తిపైననే శ్రద్ధను అచలం చేస్తానని అక్కడ భగవద్వాగ్దానం. ఒక దృష్టిలో ఉన్న శ్రద్ధ మరొక నామానికి మారితే తప్ప పూర్ణం కాదు. మరొక దృష్టిలో ఉన్న శ్రద్ధే ఉన్నచోటనే దృఢపడుతుంది. మొదటిదానికి కోత అవసరం. రెండవదానికి నీరు చాలు.

శ్రీసభలోనే పణం పెట్టిన యాత్రికులు లేకపోలేదు. ఫ్రాన్సు దేశపు బెనెడిక్టైన్ సన్న్యాసి ఆఁరి లె సో 1948లో భారతదేశానికి వచ్చారు. మరుసటి సంవత్సరం అరుణాచలంలో భగవాన్ రమణమహర్షిని దర్శించారు. అరుణగిరి గుహలలో మౌనవాసం చేశారు. కావేరీతీరాన శాంతివనం స్థాపనలో భాగస్వామి అయినారు. అభిషిక్తానందస్వామి అనే నామం ధరించారు. ఉత్తరకాశిలో గంగాతీరాన ఏకాంతసాధన చేశారు. 1973లో దేహత్యాగం చేసే వరకు క్రీస్తును విడువలేదు, అద్వైతానుభవాన్ని కూడ విడువలేదు. రెండింటి మధ్య నలిగిన ఆ హృదయవేదనకు ఆయన దినచర్యాగ్రంథం సాక్షి. స్వదేశానికి తిరిగి వెళ్లని ఆ ఒక్క యాత్రలో నిజమైన వాదం జరిగింది. వాదస్థలం ఆయన అంతఃకరణమే. అదే విధంగా దశాబ్దాల పాటు భారతదేశంలో అధ్యాపనం చేసిన జెస్యూట్ పండితుడు జాక్ దుప్యూయి, మతబహుత్వం దైవసంకల్పంలో భాగమై ఉండవచ్చునని 1997లో గ్రంథం వ్రాశారు. వాటికన్ ఆయనపై విచారణ జరిపి 2001లో హెచ్చరికాపత్రం ప్రకటించింది. సంవాదం కోసం విమానమెక్కిన పీఠమే, సంవాదంలో నిజంగా మునిగిన తన కుమారుని సంజాయిషీ అడిగింది.

గోవా ప్రసక్తి కూడ విడువరానిది. 1560లో అక్కడ ప్రారంభమైన మతవిచారణ న్యాయస్థానం హిందువులను, మతం మారినవారిని కూడ దీర్ఘకాలం పీడించింది. 1999లో దానికి క్షమాపణ చెప్పవలెనని హిందూసంఘాలు కోరాయి. 2000 మార్చి 12న రోమునగరంలో పోప్ శ్రీసభ సంతానం చేసిన పాపాలకు భగవంతుని క్షమాపణ వేడారు. సంస్కృతుల పట్ల, మతాల పట్ల చేసిన అపచారాలు కూడ అందులో ఉన్నాయి. గోవా పేరు ఆ ప్రార్థనలో వినబడలేదు. గోరేలో, ఏథెన్సులో స్థలనామాలతో సహా పలికిన నోటికి ఈ నామం బరువు కాకూడదు.

ఇంతవరకు చెప్పినది విని తృప్తిపడే హిందువుకు ఇక కఠినవాక్యం చెప్పక తప్పదు. పోప్ తన మాటను రహస్యంగా చెప్పలేదు. రాజధానిలో, పండుగనాడు, అక్షరరూపంలో చెప్పారు. మతప్రచారస్వేచ్ఛ రాజ్యాంగం 25వ అధికరణం ఇచ్చిన హక్కు. దిష్టిబొమ్మలు తగలబెట్టడం దానికి సమాధానం కాదు. అన్ని మతాలూ ఒకటేనని నిట్టూర్చి నిద్రపోవడం అంతకంటె సమాధానం కాదు. స్వశాస్త్రం చదవనివాడు సర్వమతసమానత్వం పలికితే అది ఔదార్యం కాదు, ఆలస్యం. తాను నమ్మినదాని కోసం వణికే దేహంతో ఖండాంతరాలు దాటిన వృద్ధుని ముందు, వీథి చివరి దేవాలయంలో గీతాప్రవచనానికి కూడ వెళ్లనివాడు ఏ ముఖంతో నిలుస్తాడు?

పంట అనే మాటనే మళ్లీ తలచుకోవాలి. ఒంగోలు ప్రాంతపు చరిత్ర దీనికి నిదర్శనం. అది కతోలికుల చరిత్ర కాదు, అమెరికన్ బాప్టిస్టులది. పాఠం మాత్రం ఒక్కటే. 1876-78 మహాక్షామంలో క్లౌ దొర బకింగ్‌హాం కాలువ త్రవ్వకంలో ఒక భాగం గుత్తకు తీసుకొని ఆకలిగొన్నవారికి పని చూపారు. 1878 జూలైలో వెల్లంపల్లి వద్ద ఒక్కరోజున 2,222 మంది బాప్తిస్మం పొందారు. వారిలో అత్యధికులు ఊరి చివర నిలువబడినవారు, గుడిగడప దాటనీయబడనివారు. వారి నిర్ణయాన్ని కేవలం అన్నానికి అమ్ముడుపోవడంగా చిత్రించడం వారిని రెండవసారి అవమానించడమే. సర్వభూతాలలోనూ సమంగా ఉన్న బ్రహ్మాన్ని వేదికలపై వర్ణించి, ఆ బ్రహ్మం దాహంతో చేయిచాస్తే బావి చూపనివారే ఆ పొలాన్ని పరులకు విడిచారు. ఎండిన పొలంలో ఎవరి విత్తనం మొలిచినా, దోషం విత్తినవానిది మాత్రమే కాదు.

కనుక సాధకుల కర్తవ్యం రెండు విధాలు. సంవాదానికి ఎవరు వచ్చినా అర్ఘ్యపాద్యాలిచ్చి ఆసనం చూపాలి, తరువాత వినయంతో, “అయ్యా, తమ పక్షాన పణం ఏమిటి?” అని అడగాలి. అదే ప్రశ్నను అద్దం ముందు నిలిచి తమను కూడ అడగాలి. అద్వైతం నిజమని నమ్మేవారు ఆ నమ్మకం కోసం కులాహంకారాన్ని, ఆలస్యాన్ని, అజ్ఞానపు సుఖాన్ని పణంగా పెట్టారా? పెట్టినవారి ఇంట దీపానికి ఏ అతిథి రాకవలనా భయం లేదు. పెట్టనివారి దీపం ఆరడానికి అతిథి రానక్కరలేదు.

సర్వం శ్రీకృష్ణార్పణమస్తు.