అస్తేయము కూడ అభ్యాసమే

కడప, కర్నూలు ప్రాంతముల దేవాలయములలో అర్చకులను అడుగు ప్రశ్నలు కాలమును బట్టి మారుచుండును. వర్షము, వివాహము, గ్రహదోషము అనునవి పూర్వము నుండి ఉన్న ప్రశ్నలు. నేడు వానికి మరియొకటి తోడైనది. “సామీ, మా పిల్లోడు ఫోన్లో ఆటాడతా దొంగతనాలు చేస్తాంటాడు, పాపం తగులుతుందా?” అని తల్లులు అడుగుచున్నారు. వినుటకు చిన్న ప్రశ్నయే. దానికి సరియైన సమాధానము చెప్పుటకు ధర్మశాస్త్రమును, యోగశాస్త్రమును, ఆ ఆట స్వరూపమును కూడ తెలిసికొనవలెను.

ఉదాహరణమునకు రూన్‌స్కేప్ అను క్రీడను తీసికొందము. ఇంగ్లండు దేశమునకు చెందిన జాగెక్స్ సంస్థ దీనిని 2001లో వెలువరించినది. దీని పాత రూపమును 2013లో ‘ఓల్డ్ స్కూల్ రూన్‌స్కేప్’ అను పేర మరల ఆరంభించినది. 2018 నుండి అది ఫోన్‌లలోను లభించుచున్నది. అందు వంట, చేపలవేట, కమ్మరము మున్నగు విద్యలతో పాటు ‘థీవింగ్’, అనగా చోరవిద్య, ఒకటి. ఆడువాడు మొదటి లెవల్‌లో సామాన్యుని జేబు కొట్టును. ఫలించిన ప్రతిసారి 8 అంకముల అనుభవము కూడును. పట్టుబడినచో ఒక దెబ్బ తిని, కొన్ని క్షణములు కదలక నిలిచిపోవును. శిక్ష అంతియే. 40వ లెవల్ వచ్చుసరికి కావలిభటుని జేబు, 55వ లెవల్‌కు ఆర్డూన్ నగరపు యోధుని జేబు, 80వ లెవల్‌కు మహావీరుని జేబు అతని చేతికి అందును. చివరిదైన 99వ లెవల్‌కు 1,30,34,431 అంకములు కావలెను. 92వ లెవల్ చేరినవాడు కూడ దాదాపు సగము దారిలోనే ఉన్నట్లు లెక్క. మొదటి సామాన్యుని జేబు ఒక్కటే కొట్టుచు పోయినచో పదునారు లక్షల పర్యాయములకు పైగా కొట్టవలెను.

ఈ విషయమున రెండు తొందరపాటు తీర్పులు వినవచ్చుచున్నవి. చౌర్యము మహాపాతకము కనుక ఆటలో చేసినను పాపమే అని ఒకరు అందురు. ఆట ఆటయే, అందు విచారింపవలసినది ఏమియు లేదు అని మరియొకరు అందురు. ఈ రెండింటికిని సమాధానము కడప సీమలో ప్రవహించు రెండు ఏరుల కథలలోనే ఉన్నది.

మొదటిది మాండవ్యనది. రాయచోటి వీరభద్రస్వామి ఆలయము దీని తీరముననే వెలసినది. మాండవ్య మహర్షి పేరు వినగానే భారతము ఆదిపర్వములోని అణిమాండవ్యుని కథ గుర్తుకు వచ్చును. మౌనవ్రతములోనున్న ఆ ముని ఆశ్రమమున దొంగలు సొత్తు దాచి తామును దాగిరి. రాజభటులు అడిగినను ముని పలుకలేదు. అతనిని కూడ దొంగగా ఎంచి శూలముపై ఎక్కించిరి. తపోబలమున ప్రాణము నిలిచినది. పిదప ఆ ముని ధర్మదేవత వద్దకు పోయి తాను చేసిన పాపమేమని నిలదీసెను. బాల్యమున ఆటగా పురుగులను గడ్డిపరకతో గుచ్చిన ఫలమని సమాధానము వచ్చెను. ముని ఆ న్యాయమును అంగీకరింపలేదు. ఎరుక లేని బాలుని చేష్టకు ఇంతటి దండనము అధర్మమని ధర్మదేవతనే శపించెను. పదునాలుగేండ్లలోపు బాలుని చేష్టలకు పాపము అంటదని మర్యాద విధించెను. ఆ శాపఫలముగా జన్మించినవాడే విదురుడు.

ఆ బాలుడు ఆటలో గుచ్చినది ప్రాణమున్న పురుగులను. అట్టిదానికే బాల్యమున పాపము లేదని మహర్షి మర్యాద ఏర్పరచినప్పుడు, ప్రాణమే లేని చిత్రపు బొమ్మ జేబు కొట్టిన బాలునికి నరకమును చూపి భయపెట్టుట శాస్త్రసమ్మతము కానేరదు. చదరంగమున రాజును కట్టడి చేసినవాడు రాజద్రోహి కాడు. నాటకమున రావణపాత్ర ధరించినవాడు పరదారాపహారి కాడు. చౌర్యమనగా పరస్వమును యజమాని అనుమతి లేక హరించుట. పోగొట్టుకొన్నవాడే లేనిచోట ఆ లక్షణము పొసగదు. కావున మొదటి తీర్పు నిలువదు.

రెండవది బాహుద. నందలూరు సౌమ్యనాథుని ఆలయము చెంత ప్రవహించు చెయ్యేటికి అదియే ప్రాచీననామము. బాహువును ఇచ్చినది బాహుద. చేతిని ఇచ్చిన ఏరు చెయ్యేరు. శాంతిపర్వములోని శంఖలిఖితుల కథను స్థానికులు ఈ నదితో ముడిపెట్టి చెప్పుకొందురు. కాణిపాకమున ప్రవహించు బాహుదకును ఇదే కథ ప్రసిద్ధము. లిఖితుడు అన్నగారైన శంఖుని ఆశ్రమమునకు వచ్చి, అన్న లేని సమయమున చెట్టు పండ్లు కోసి తినుచుండెను. శంఖుడు వచ్చి ఇవి ఎక్కడివని అడుగగా, నవ్వుచు ఇక్కడివే అనెను. అడుగక తీసికొన్నది చౌర్యమే, రాజును దండనము కోరుమని అన్న చెప్పెను. సుద్యుమ్న మహారాజు క్షమింపబోయినను లిఖితుడు ఒప్పుకొనక శిక్షనే కోరెను. రాజు అతని చేతులు ఖండింపజేసెను. పిదప అన్న ఆజ్ఞతో బాహుదలో స్నానమాడి తర్పణమునకు పూనుకొనగానే చేతులు మరల మొలిచెను.

ఇక్కడ నష్టము ఎంత? కొన్ని పండ్లు. ఎవరివి? తోడబుట్టిన అన్నవి. అయినను శంఖుడు ఏల ఉపేక్షింపలేదు? అతడు చూచినది పండ్ల విలువను కాదు, తమ్ముని నవ్వును. ఆ నవ్వులో యజమాని లేడు. చెట్టు ఉన్నది, పండు ఉన్నది, ఆకలి ఉన్నది. ఇది ఒకరిది అను స్ఫురణ మాత్రము లేదు. ‘ఆటయే కదా’ అనువారు ఈ చోట నిలిచి ఆలోచింపవలెను. ఆ క్రీడలోని గ్రామస్థుని జేబు వేయిసార్లు కొట్టినను ఖాళీ కాదు. అతనికి ఇల్లు లేదు, ఆకలి లేదు, రేపు లేదు. కొట్టిన మరుక్షణమే అతడు ఏమియు జరుగనట్లు తిరుగుచుండును. ఆ ఆటలో దొంగ ఉన్నాడు, సొత్తు ఉన్నది, యజమాని మాత్రము లేడు. దోషమున్నచో అది అచ్చటనే ఉన్నది.

మన వాఙ్మయము దొంగను దాచలేదు. అరువదినాలుగు కళలలో చోరకళ ఒకటని లోకోక్తి కూడ కలదు. కాని మనవారు దొంగను చూపిన ప్రతిచోట యజమానిని కూడ చూపిరి. శూద్రకుని మృచ్ఛకటికమున శర్విలకుడు బ్రాహ్మణుడై యుండియు చారుదత్తుని ఇంటికి కన్నము వేయును. యజ్ఞోపవీతమునే కొలతాడుగా వాడును. ఆ కన్నపు సొగసు చూచి ప్రేక్షకుడు నవ్వును. అయితే కవి అక్కడ ఆగలేదు. తెల్లవారిన తరువాత ఆ ఇంటిని చూపెను. పోయినవి వసంతసేన దాచుకొన్న నగలు. దరిద్రుడైన తనను లోకము నమ్మదని చారుదత్తుడు కుమిలిపోవును. అతని భార్య ధూత తన రత్నావళిని తీసి ఇచ్చును. పోతన భాగవతమున వెన్నదొంగ అయిన బాలకృష్ణుని లీలను చదివి మురియువారు, ఆ వెన్న పోయిన గోపికలు యశోద వద్దకు వచ్చి మొరపెట్టుకొనుటను కూడ అక్కడనే చదువుదురు. భగవంతుని లీలలో సైతము యజమానికి నోరున్నది.

యజమాని కనబడని ఆటకు, యజమాని ఉన్న లోకమునకు నడుమ ఎంత దూరమో తెలియుటకు ఒక నిజమైన వ్యాజ్యము చాలును. నెదర్లాండ్స్ దేశమున 2007లో ఒక పదమూడేండ్ల బాలుని మరి ఇద్దరు బాలురు కొట్టి, కత్తితో బెదిరించి, రూన్‌స్కేప్‌లో అతడు సంపాదించిన ఒక తాయెత్తును, ఒక ముఖకవచమును తమ ఖాతాకు మార్పించుకొనిరి. అవి వస్తువులే కావు, కనుక చౌర్యమే లేదని వాదము నడచినది. ఆ దేశపు సర్వోన్నత న్యాయస్థానము 2012 జనవరి 31న అది చౌర్యమే అని తీర్పు చెప్పెను. వానికై ఆ బాలుడు వెచ్చించిన కాలము, శ్రమ వానికి విలువ కల్పించినవని, అవి అతని అధీనములో ఉన్నవని న్యాయస్థానము గ్రహించెను. ఒకే ఆటలో బొమ్మ జేబు కొట్టుట క్రీడ అయినది. తోటి ఆటగాని సొత్తు లాగికొనుట నేరమైనది. భేదము వస్తువులో లేదు. ఆవల ఒక మనిషి ఉన్నాడా లేడా అనుటలోనే ఉన్నది.

ఆ ఆటలో ఒక సత్యము కూడ ఉన్నదని ఒప్పుకొనవలెను. అందు ఎవ్వడును పుట్టుదొంగ కాడు. ప్రతివాడును మొదటి లెవల్‌లోనే ఆరంభించును. ఈ పాటి న్యాయమును ఒకనాటి పాలకులు మన మనుష్యుల యెడ పాటింపలేదు. 1871లో ఆంగ్లేయులు నేరస్థ జాతుల చట్టమును చేసిరి. 1911 చట్టముతో అది మద్రాసు ప్రెసిడెన్సీకి విస్తరించినది. ఎరుకల మున్నగు కులములవారిని పుట్టుకతోనే దొంగలుగా లెక్కించి, స్టువర్టుపురము, కర్నూలు సీమలోని సిద్ధాపురము వంటి సెటిల్‌మెంట్లలో ఉంచి కాపలా కాసిరి. మద్రాసు రాష్ట్రము ఆ చట్టమును 1947లో రద్దు చేసినది. దేశమంతటను 1952 ఆగస్టు 31న ఆ ముద్ర తొలగినది. చట్టము పోయినను ఆ చూపు కొందరిలో నేటికిని పోలేదు. ఆస్తికులలో ఆ చూపు ఉన్నచో అది వేదవిరుద్ధము. యాగంటి, మహానంది, శ్రీశైల క్షేత్రములలో అభిషేకవేళ పఠించు నమకము మూడవ అనువాకమున రుద్రుడు తస్కరులకును ప్రభువుగా నమస్కరింపబడుచున్నాడు. అది చౌర్యమునకు అనుమతి కాదు. దొంగ అనబడినవాడు కూడ ఈశ్వరునికి వెలుపల లేడు అను ఉపదేశము.

వెలుపల లేడు కనుకనే అతడు మరలి రాగలడు. అహోబిల నృసింహుని పాశురములతో స్తుతించిన తిరుమంగై ఆళ్వారు మొదట దారిదోపిడి చేసినవాడే. భాగవతారాధనకై దోచుచున్నానను సమాధానము ఆయనకు ఉండెను. పెండ్లికుమారుని వేషమున వచ్చిన నారాయణుని దోచి, నగల మూట ఎత్తబోగా అది కదలలేదు. ఏ మంత్రము వేసితివో చెప్పుమని గద్దింపగా, స్వామి అష్టాక్షరిని చెవిలో ఉపదేశించెను. ఎవరిని దోచుచున్నాడో తెలియగానే ఆ చేయి మారినది.

కావున చౌర్యము జన్మ కాదు, అభ్యాసము. అస్తేయము కూడ అభ్యాసమే. పతంజలి మహర్షి యమములు అయిదింటిలో అస్తేయమును చేర్చి, అందు స్థిరపడినవానికి సర్వరత్నములును తామే సమీపించునని చెప్పెను. ఆ సాధనకు కూడ మెట్లు ఉన్నవి. ఇతరుల వస్తువును ముట్టకుండుట మొదటి మెట్టు. అది చాలమందికి సాధ్యమే. ఎవ్వరును చూడనిచోట ముట్టకుండుట తరువాతిది. దేవతలు ఇచ్చినదానిని వారికి అర్పింపక తానే అనుభవించువాడు దొంగయే అని గీత మూడవ అధ్యాయమున భగవానుడు చెప్పినది ఇంకను పై మెట్టు. పరధనముపై ఆశయే పుట్టకుండుటను ఈశోపనిషత్తు మొదటి మంత్రముననే కోరినది.

ఈ ఎండ సీమలో దీనికి నిత్యపరీక్ష నీరే. సుంకేసుల వద్ద బయలుదేరి కడప వరకు పోవు కె.సి. కాలువ క్రింద వంతు కాని రాత్రి తూము ఎత్తుకొన్న రైతునకు ఎదుట ఎవ్వరును కనబడరు. చీకటి, నీరు, తన మడి మాత్రమే కనబడును. కాని కాలువ చివరి ఆయకట్టున ఒకడు తెల్లవారుజామున పార పట్టుకొని రాని నీటికై చూచుచుండును. ఆ చివరివానిని చూడగలుగుటయే అస్తేయము. తండ్రి రాత్రివేళ తూము ఎత్తి, పగటివేళ కుమారుని ఫోన్ లాగికొని ధర్మము చెప్పినచో ఆ బాలుడు నేర్చుకొనునది రాత్రి పాఠమే.

అడుగవచ్చిన తల్లికి చెప్పవలసినది ఇదియే: అమ్మా, పాపమని పిల్లవానిని బెదిరింపవద్దు, ఆటయే కదా అని వదలనూ వద్దు. వాని ప్రక్కన కూర్చొని ఆట చూచి, ఆ జేబు ఎవరిది, అది పోయిన రాత్రి అతడు ఏమి తినును అని ఒక్కసారి అడుగుము. వాడు నవ్వవచ్చును; లిఖితుడును మొదట నవ్వినాడు. పిదప ప్రక్కింటి నుండి వస్తువు తేవలసి వచ్చినప్పుడు వానినే పంపి అడిగి తెమ్మనుము, పని తీరగానే వాని చేతనే తిరిగి ఇప్పింపుము. పదునారు లక్షల పర్యాయములు తీసికొనుటకు ఓపికపట్టిన చేతికి, అడిగి పుచ్చుకొని తిరిగి ఇచ్చుట నేర్పుటకు దినమునకు ఒక్క పర్యాయము చాలును.

స్వస్తి.