రెండు పడవలు, ఒక సైకిలు

సంక్రాంతికి మా అత్తగారింట్లో అందరం కలిశాం. అరిసెలు వేగుతుండగా మా పెద్దమ్మాయి చదువు మాటల్లోకి వచ్చింది. ఇంటర్ మొదటి ఏడు, ఎంపీసీ. ఎనిమిదేళ్ల నుంచి షటిల్ ఆడుతోంది, జిల్లా దాకా వెళ్లింది. "ఇంక ఆ బ్యాటు పక్కన పెట్టించు, రెండు పడవల మీద కాళ్లెందుకు?" అన్నారు ఆడపడుచు. మామగారు, పిన్నత్తగారు, పక్కింటి మాష్టారు, మా వారు కూడా వరసగా అదే మాట. ఐదుగురయ్యారు. ఆరో మనిషిని నేనే. నిజం చెప్పొద్దూ, అందరూ అంటుంటే నోటికి అదే వచ్చేసింది. పిల్ల ఏం మాట్లాడలేదు. ఇంటికొచ్చాక చూస్తే బ్యాటు అటక మీద ఉంది.

మా చిన్న తోడికోడలు బెల్జియంలో గెంట్ అనే ఊళ్లో ఉంటుంది. పండక్కి రాలేకపోయింది కదా అని ఆ వారం ఫోన్ చేస్తే ఈ సంగతి చెప్పాను. "అక్కా, ఈ ఊళ్లో ఆ మాట అంటే నవ్వుతారు. వీళ్ల లోటె కొపెకీ చేసేదంతా రెండు పడవల పనే" అంది. ఎవరా పిల్ల అంటే, సైకిల్ తొక్కుతుందట. మనకి సైకిలంటే స్కూలుకెళ్లే పిల్లలు, పాలవాళ్లు గుర్తొస్తారు. అక్కడ మనకి క్రికెట్ ఎలాగో వాళ్లకి సైకిల్ అలాగట. ఏప్రిల్‌లో ఒక ఆదివారం టూర్ ఆఫ్ ఫ్లాండర్స్ పందెం ఉంటే దారులు మూసేసి, జనం గుట్టల మీద పొద్దున్నుంచే నిలబడతారట.

ఆ తర్వాత పది రోజులు మధ్యాహ్నం గిన్నెలు సర్దుకున్నాక ఆమె పందేలే చూశాను. సీరియల్ రెండు వారాలు వెనకబడింది. అయినా కథ అక్కడే ఆగి ఉందనుకోండి, అది వేరే సంగతి.

లోటె 1995లో పుట్టింది. ఊరు రమ్స్ట్, ఆంట్వెర్ప్ దగ్గర. ఆమె ఆడేవి రెండు వేర్వేరు ఆటలు. ఒకటి రోడ్డు పందెం. ఒక్కరోజులో దాదాపు 150 కిలోమీటర్లు తొక్కాలి. ఎండ, వాన, ఎదురుగాలి, రాళ్లు పరిచిన పాత దారులు, నిట్టనిలువు గుట్టలు. నాలుగు గంటలు పడుతుంది. రెండోది ట్రాక్. కప్పు కింద, చెక్కతో చేసిన 250 మీటర్ల గుండ్రటి దారి, మలుపుల దగ్గర గోడలా లేచి ఉంటుంది. ఆ సైకిలుకి బ్రేకులుండవు, గేరు ఒక్కటే, చక్రం తిరిగినంతసేపూ పెడల్ తిరగాల్సిందే. అక్కడ ఎలిమినేషన్ అని ఒక పందెం ఉంది. రెండు రౌండ్లకోసారి ఆఖరున ఉన్నవాళ్లని బయటికి పంపేస్తారు. చూస్తుంటే నాకే గుండె దడ. ఒకదానికి గంటల తరబడి ఓర్పు కావాలి, ఇంకోదానికి క్షణంలో నిర్ణయం కావాలి. మన లెక్కలో ఇవి ఎంపీసీ, సంగీతం అన్నంత దూరం.

ట్రాక్ మీద మాడిసన్ అని ఇంకొకటి ఉంది, దాని గురించి కాస్త ఎక్కువ చెప్తాను. ఇద్దరు ఒక జట్టు. ఒకరు పందెంలో తొక్కుతుంటే రెండోవాళ్లు పై అంచున నెమ్మదిగా తిరుగుతూ ఊపిరి తీసుకుంటారు. వంతు మారేటప్పుడు చెయ్యీ చెయ్యీ పట్టుకుని, తన వేగమంతా ఎదుటిమనిషికిచ్చి విసిరినట్టు ముందుకి తోస్తారు. అంత వేగంలో, చుట్టూ ఇంతమంది ఉండగా. ఆడవాళ్లకి ప్రపంచ పోటీల్లో మాడిసన్ మొదటిసారి పెట్టింది 2017లో, హాంకాంగ్‌లో. ఆ మొదటి పందెం గెలిచింది యోలీన్ దోర్, లోటె కొపెకీ. లోటెకి అప్పుడు ఇరవై ఒకటి. ఆ చేతులు కలిసే క్షణాన్ని నేను వెనక్కి తిప్పి తిప్పి చూశాను. విశ్రాంతి తీసుకుంటున్నదాన్ని పని ఎగ్గొడుతోందని అక్కడ ఎవరూ అనరు. ఆమె ఊపిరి తీసుకుంటేనే రెండోదానికి వేగం అందుతుంది.

2023 సంగతి చెప్పాలి. ఆ మార్చిలో లోటె తోడబుట్టినవాడు పోయాడు. కొన్ని రోజులకే ఆమె నోకరె కూర్సె అనే పందెంలో దిగి గెలిచింది. మన ఇళ్లలో అయితే ఏమనేవాళ్లో మీకూ తెలుసు, "ఇంకా కన్నీళ్లు ఆరలేదు, పందేలేంటి?" అని. నేనూ మొదట అదే అనుకున్నాను. గీత దాటాక ఆమె మొహం చూశాక అనలేకపోయాను. ఏప్రిల్ 2న టూర్ ఆఫ్ ఫ్లాండర్స్. ఔడె క్వారెమాంట్ అనే రాళ్ల గుట్ట మీద అందరినీ వదిలేసి, మిగిలిన దారంతా ఒంటరిగా తొక్కి గెలిచింది. జులైలో ఆడవాళ్ల టూర్ డి ఫ్రాన్స్. మొదటి రోజే గెలిచి పసుపు జెర్సీ వేసుకుంది, టూర్మలే కొండ వచ్చేదాకా అది ఆమె ఒంటి మీదే ఉంది. చివరికి తన జట్టులోనే ఉన్న డెమీ వొలరింగ్ గెలిచింది, లోటె రెండోది. అది జులై 30న ముగిసింది. ఆ వెంటనే ఆగస్టులో గ్లాస్గోలో ప్రపంచ పోటీలు. ట్రాక్ మీద ఎలిమినేషన్, పాయింట్స్ పందెం రెండూ గెలిచి, ఆగస్టు 13న రోడ్డు పందెం కూడా గెలిచేసింది. ఇవన్నీ మూడు నాలుగు వారాల్లో. నాకైతే పండగ పిండివంటలయ్యాక నాలుగు రోజులు నడుం లేవదు.

రెండోది మొదటిదానికి అడ్డం అయితే ఇది జరగదు కదా. ట్రాక్ మీద గుంపులో సందు చూసి దూరడం, ఆఖరి రెండు వందల మీటర్లకి బలం దాచుకోవడం నేర్చుకున్న మనిషి రోడ్డు చివర్లో అదే వాడుకుంటుంది. రోడ్డు మీద గంటలు తొక్కిన కాళ్లు ట్రాక్ మీద అలిసిపోవు. పారిస్-రూబే చూస్తే నాకు ఇది బాగా అర్థమైంది. ఆడవాళ్లకి ఆ పందెం 2021లోనే మొదలుపెట్టారు, మగవాళ్లది 1896 నుంచీ ఉంది! దారిలో పొడవునా ఎత్తుపల్లాల రాళ్లు. కానీ ముగింపు రోడ్డు మీద కాదు, రూబే ఊళ్లోని వెలోడ్రోమ్‌లో, అంటే ట్రాక్ మీద. 2024 ఏప్రిల్‌లో ఆరుగురు కలిసి ఆ వెలోడ్రోమ్‌లోకి వచ్చారు, ఒళ్లంతా దుమ్ము. ఆఖరి పరుగులో లోటె అందరినీ దాటేసింది. రోడ్డు పందెంలో గెలుపు తేలింది ట్రాక్ మీద. ఆ పక్కనే ఉన్న కప్పు వేసిన వెలోడ్రోమ్‌లో 2021లో ఆమె పాయింట్స్ పందెంలో ప్రపంచ విజేత అయింది. మీరే చెప్పండి, అక్కడ ఏ పడవ ఎక్కడ ఆగింది, ఏది ఎక్కడ మొదలైంది?

ఇంకో సంగతి చూసి నేను కుర్చీలోంచి లేచాను. పారిస్ ఒలింపిక్స్, ఆగస్టు 4, ఆడవాళ్ల రోడ్డు పందెం. బంగారం అమెరికా అమ్మాయి క్రిస్టెన్ ఫాక్నర్‌కి, వెండి నెదర్లాండ్స్ మరియానె వోస్‌కి, కంచు లోటెకి. ఫాక్నర్ కొద్ది రోజులకే ట్రాక్ మీద జట్టు పందెంలోనూ బంగారం తెచ్చుకుంది. వోస్ 2008లో బీజింగ్‌లో ట్రాక్ మీద, 2012లో లండన్‌లో రోడ్డు మీద బంగారాలు గెలిచిన మనిషి. అంటే ఆ రోజు మెడలో పతకాలు వేసుకున్న ముగ్గురూ రెండు పడవల వాళ్లే! మా వారిని పిలిచి చూపించాను. "ఊఁ" అన్నారు. ఆ ఊఁ నాకు బాగా తెలుసు.

ఇక్కడితో ఆపితే నేను వాదన గెలిచినట్టే, కానీ అది న్యాయం కాదు. వారం తర్వాత, ఆగస్టు 11న ట్రాక్ మీద ఆమ్నియం ఉంది, ఒకే రోజు నాలుగు పందేలు కలిపి ఒకటి. దాంట్లో లోటెకి నాలుగో స్థానం వచ్చింది. రోడ్డు మానేసి ఉంటే అది పతకమయ్యేదేమో అని ఎవరైనా అంటే నా దగ్గర జవాబు లేదు. తర్వాత 2025లో టూర్ డి ఫ్రాన్స్ గెలవాలని కొండల మీద దృష్టి పెట్టింది. ఇటలీ పందెంలో వెన్నునొప్పితో తప్పుకుంది, టూర్‌లో బాగా వెనకబడింది. ఒక్కదాని మీదే గురి పెట్టినా అనుకున్నది రాలేదు. అదే ఏడు వసంతంలో టూర్ ఆఫ్ ఫ్లాండర్స్ మూడోసారి గెలిచింది, మూడుసార్లు గెలిచిన మొదటి మహిళ తనే. రెంటికీ చెడ్డ రేవడి అని మనవాళ్లు భయపెడతారు. ఒకటే పట్టుకున్నా చెడొచ్చు, ఆ మాట మాత్రం ఎవరూ చెప్పరు.

ఇంకా ముఖ్యమైంది ఒకటుంది. లోటె వెనక ఎంతమంది ఉన్నారో లెక్కపెట్టండి. సైకిలు బాగుచేసే మెకానిక్, కాళ్లు పట్టే మనిషి, వంటమనిషి, కోచ్, దారి చూపే కారు. నెల తిరిగితే జీతం. పెద్ద జట్లలో ఆడవాళ్లకి కనీస జీతం ఇవ్వాలన్న నిబంధన సైక్లింగ్ సమాఖ్య పెట్టింది 2020లోనే, అప్పుడు ఏడాదికి 15,000 యూరోలు. అంతకుముందు చాలామంది పక్కన వేరే ఉద్యోగం చేసుకుంటూ పందేలు తొక్కారు. అది మూడో పడవ. దాని గురించి అప్పుడు ఎవరూ సామెత చెప్పలేదు!

నాకు పెళ్లయిన కొత్తలో బీఎడ్ చేస్తానన్నాను. సీటు కూడా వచ్చింది. "రెండు పడవలెందుకమ్మా, ముందు ఇల్లు చూసుకో" అన్నారు. ఎవరూ కోపంగా అనలేదు, ప్రేమగానే అన్నారు. కానీ పొద్దున్న ఐదింటికి లేచి వంట ఎవరు చేస్తారు, పిల్లని ఎవరు చూస్తారు అన్న లెక్క ఒక్కసారి కూడా ఎవరూ కూర్చుని వెయ్యలేదు. వేసుంటే సాధ్యమేనని తేలేదేమో, కాదని తేలేదేమో. లెక్క వేసి కాదన్నా నాకింత బాధ ఉండేది కాదు. సామెత ఉంటే లెక్క అక్కర్లేదు, అదే దాని సుఖం. మా వారు ఆఫీసు, రియల్ ఎస్టేట్, అపార్ట్‌మెంట్ కమిటీ, మూడూ నడిపారు. ఆయనకి పడవల మాట ఎవరూ చెప్పలేదు. మూడింటికీ టిఫిన్ బాక్సు మాత్రం నేనే కట్టాను.

మా పిల్ల లోటె కాదు. జిల్లా దాకా వెళ్లింది, అంతే. ప్రపంచ విజేత కథ చెప్పి పిల్ల మీద ఇంకో బరువు వెయ్యడం నాకిష్టం లేదు. అది షటిల్‌లో గెలవకపోవచ్చు, ఎంసెట్‌లో ర్యాంకూ రాకపోవచ్చు. కాలేజీలో సాయంత్రం స్టడీ అవర్ ఆరున్నర దాకా. ఇండోర్ స్టేడియం ఇంటికి నాలుగు కిలోమీటర్లు, ఆటోకి రానూపోనూ నూట ఇరవై. ఈ అంకెలు ఒక కాగితం మీద రాసి మా వారి ముందు పెట్టాను. "సామెత వద్దు, ఇది చూసి చెప్పండి" అన్నాను. ఆయన కళ్లజోడు పెట్టుకుని చాలాసేపు చూశారు. రోజూ కుదరదన్నారు. మంగళ, గురు, ఆదివారాలు కుదురుతుందని తేలింది. మంగళ, గురువారాలు ఆఫీసు నుంచి వచ్చేటప్పుడు ఆయన స్టేడియం నుంచి తీసుకొస్తారు. ఆ రెండు రోజులు అన్నం ఒక్కటే నేను వండుతాను, కూర పొద్దుటిదే. మామగారికి వేడి కూర లేకపోతే పడదు. ఆయనతో నేనే మాట్లాడాను, మొహం చిట్లించుకున్నారు కానీ కాదనలేదు. కాలేజీలో మాత్రం స్టడీ అవర్ వదలమంటున్నారు, ఉత్తరం రాసివ్వమన్నారు. రాస్తున్నాను.

నిన్న స్టూలు వేసుకుని అటక మీంచి బ్యాటు తీసి పిల్ల మంచం మీద పెట్టాను. కాలేజీ నుంచి వచ్చి చూసింది. నేను వంటింట్లో ఉన్నాను, వస్తుందేమో, ఏమైనా అంటుందేమో అని చెవులు అటే వేశాను.

"అమ్మా, గ్రిప్ అంతా ఊడిపోయింది. కొత్తది కొనాలి, నూట యాభై అవుతుంది" అంది.